ఖజానా కుర్చీ దిగి బ్యాంకు కుర్చీ ఎక్కవచ్చా? క్యాథ్లీన్ బ్రౌన్ ఉదంతంపై చర్చ

నదీతీరం:
కాలిఫోర్నియాలో ట్రెజరర్‌ను, అంటే రాష్ట్ర ఖజానా అధికారిని, ప్రజలే నేరుగా ఓటు వేసి ఎన్నుకుంటారు. రాష్ట్రం తరఫున బాండ్లు, అంటే అప్పు పత్రాలు, అమ్మేది ఆ కార్యాలయమే. కాల్‌పెర్స్, కాల్‌స్టర్స్ అనే రెండు భారీ పింఛను నిధుల బోర్డుల్లోనూ ట్రెజరర్‌కు పదవి రీత్యా స్థానం ఉంటుంది. 1991 జనవరి నుంచి నాలుగేళ్లు ఆ పదవిలో ఉన్న క్యాథ్లీన్ బ్రౌన్, గవర్నరుగా పనిచేసిన పాట్ బ్రౌన్ కుమార్తె, రెండు విడతలుగా గవర్నరు గిరీ చేసిన జెర్రీ బ్రౌన్ సోదరి. 1994లో ఆమె కూడా గవర్నరు పదవికి పోటీచేసి పీట్ విల్సన్ చేతిలో ఓడిపోయారు. తరువాత బ్యాంక్ ఆఫ్ అమెరికాలో ఉన్నతోద్యోగంలో చేరి, అక్కడి నుంచి గోల్డ్‌మన్ శాక్స్ అనే పెట్టుబడి బ్యాంకుకు వెళ్లి, పశ్చిమ ప్రాంతంలోని ప్రభుత్వ సంస్థలకు అప్పులు సమకూర్చే విభాగానికి అధిపతి అయ్యారు. రాష్ట్రం తరఫున బ్యాంకులతో బేరమాడిన మనిషి, కొన్నేళ్లకు అదే బల్లకు అవతలి పక్క కూర్చోవడాన్ని చట్టం ఒప్పుకుంటే సరిపోతుందా, మనం కూడా ఒప్పుకోవాలా అన్నది నా ప్రశ్న. నా మట్టుకు నేను ఒప్పుకోలేను.

పద్దుల మనిషి:
నదీతీరం గారూ, ఓడిపోయేనాటికి ఆమె వయసు 49. న్యాయశాస్త్రం చదివి, ప్రభుత్వ ఆర్థిక వ్యవహారాల్లో చేయి తిరిగిన మనిషి ఆ తరువాత ఏ పని చేయాలని మీ ఉద్దేశం? 1990లో ఓటర్లు ఆమోదించిన 140వ ప్రతిపాదన ప్రకారం, ఎంత సమర్థులైనా ట్రెజరర్‌గా రెండు పర్యాయాలకు మించి ఉండే వీలు లేదు. ఇల్లు ఖాళీ చేయమని మనమే చెప్పి, వెళ్లినవారు ఎక్కడ అద్దెకు దిగారో చూసి తప్పుపట్టడం న్యాయం కాదు. పదవి దిగిన అధికారులు ఏడాదిపాటు తమ పాత కార్యాలయం ముందు ఇతరుల తరఫున పైరవీ చేయకూడదన్న నిబంధన కాలిఫోర్నియాలో ఉంది. ఆమె గోల్డ్‌మన్‌లో చేరేనాటికి ఏడాది కాదు, అంతకు ఎన్నో రెట్లు కాలం గడిచింది.

ఇంకొక మాట. 1975 నుంచి 1987లో చనిపోయేవరకు ట్రెజరర్‌గా ఉన్న జెస్సీ అన్రూ ఏ బ్యాంకులోనూ చేరలేదు. నామమాత్రంగా ఉన్న ఆ పదవిని వాల్‌స్ట్రీట్ భయభక్తులతో చూసే పదవిగా మార్చినవారు, రాజకీయానికి డబ్బే తల్లిపాలు అన్నవారు ఆయనే. కాబట్టి కుర్చీ వదలకుండా కూర్చున్నంత మాత్రాన మనిషి మడి కట్టుకున్నట్టు అనుకోనవసరం లేదు.

నదీతీరం:
మీరు చెప్పిన కాలపు లెక్కను కాదనను. కానీ 2008 నవంబరులో బయటికి వచ్చిన సంగతిని మరచిపోలేం. కాలిఫోర్నియా బాండ్లను అమ్మిపెట్టి రుసుము పుచ్చుకున్న గోల్డ్‌మన్, తన ఖాతాదారుల్లో కొందరికి అవే బాండ్లు దెబ్బతింటాయన్న పందెం కాయమని, అంటే ఎగవేత బీమా లాంటి ఒప్పందాలు కొనమని సలహా ఇచ్చినట్టు పత్రికలు రాశాయి. 2010లో అప్పటి ట్రెజరర్ బిల్ లాకియర్ ఇలాంటి ఒప్పందాల గురించి గోల్డ్‌మన్‌తో పాటు మరికొన్ని బ్యాంకులనూ వివరణ అడిగారు. ఆ సలహాలో క్యాథ్లీన్ బ్రౌన్‌కు పాత్ర ఉందని నేను అనడం లేదు. ఆమె పేరు తెచ్చిపెట్టే నమ్మకం ఒక గదిలోనూ, ఆ నమ్మకానికి ఎదురు పందెం పక్క గదిలోనూ, రెండూ ఒకే కప్పు కింద నడిచాయంటున్నాను.

ఆ తరువాతి సంగతి మరీ ఇబ్బందికరమైనది. 2013లో ఆమె సెంప్రా ఎనర్జీలో డైరెక్టరు అయ్యారు. 2015 అక్టోబరు 23న ఆ సంస్థ అనుబంధ కంపెనీకి చెందిన ఆలిసో కాన్యన్ గ్యాస్ నిల్వ బావిలో లీకేజీ బయటపడింది. పక్కనున్న పోర్టర్ రాంచ్ నుంచి వేల కుటుంబాలు ఇళ్లు వదిలి వెళ్లవలసి వచ్చింది. గవర్నరు జెర్రీ బ్రౌన్ అత్యవసర పరిస్థితి ప్రకటించింది 2016 జనవరి 6న. ఆలస్యానికి కారణం ఏదైనా, అన్న ప్రభుత్వంలో, చెల్లెలు కంపెనీ బోర్డులో ఉన్నప్పుడు జనం నోరు మూయించడం ఎవరి తరం?

బాండ్ల గుమాస్తా:
నేను కొంతకాలం పురపాలక బాండ్ల లెక్కలు చూసే చిన్న ఉద్యోగం చేశాను. ఇద్దరూ మనిషి చుట్టూ తిరుగుతున్నారు గానీ, బాండు అమ్ముడయ్యే తీరు దగ్గర ఆగడం లేదు. ఆ తీరులు ప్రధానంగా రెండు. మొదటిది పోటీ వేలం: ఫలానా రోజు ఫలానా గంటకు అని ప్రకటన ఇస్తారు, బ్యాంకులు తమ వడ్డీ రేట్లు పంపుతాయి, రాష్ట్రానికి మొత్తం మీద ఎవరిది తక్కువ ఖర్చో వారికే బాండ్లు దక్కుతాయి. అక్కడ పాత పరిచయానికి పనిలేదు. రెండవది బేరం కుదుర్చుకునే అమ్మకం: బ్యాంకును ముందే ఎంచుకుంటారు, ధర తరువాత తేలుతుంది. ఎంపిక ఉన్నచోటే పరిచయానికి విలువ, ఆ విలువకే పెద్ద జీతం.

ఆ తేడా ఎంతుంటుందో చూడండి. రుసుమును వెయ్యి డాలర్ల బాండుకు ఇన్ని డాలర్లని లెక్కగడతారు. ఉదాహరణకు వెయ్యికి 5 డాలర్లనుకుంటే, వంద కోట్ల డాలర్ల అప్పుపై అది 50 లక్షల డాలర్లు. అదే అప్పు, అసలు సొమ్మును చివర్లో తీర్చే 30 ఏళ్లది అయితే, వడ్డీలో 0.01 శాతం తేడా వచ్చినా ఏటా లక్ష చొప్పున మొత్తం 30 లక్షల డాలర్లు. అమ్మకం రోజు ఉదయం ఫోనులో ఆ చివరి దశాంశం దగ్గర ఎవరు ముందు తగ్గుతారన్నదే అసలు పోరు. అవతలివారు ఎక్కడ తగ్గుతారో ఒకప్పుడు ఇవతల కూర్చున్న మనిషికి తెలుస్తుంది. ఏడాది విరామం ఆ జ్ఞాపకాన్ని చెరపలేదు, పదేళ్ల విరామమూ చెరపలేదు.

అమెరికాలో ఇలాంటి బాండ్లు అమ్మిపెట్టే బ్యాంకుల కోసం 1994లో వచ్చిన జి-37 అనే నియమం కూడా ఈ తేడాను గుర్తించింది. బాండ్లు అమ్మే అధికారికి బ్యాంకు తరఫువారు పరిమితి మించి ఎన్నికల విరాళం ఇస్తే, రెండేళ్లపాటు ఆ ప్రభుత్వంతో బేరపు అమ్మకాలు చేయకూడదు, పోటీ వేలంలో మాత్రం పాల్గొనవచ్చు. అయితే ఆ నియమం బ్యాంకు నుంచి అధికారి వైపు వెళ్లే డబ్బునే చూస్తుంది, అధికారే బ్యాంకు వైపు నడిచి వెళితే దాని కంట పడదు.

దిగిన తరువాతి కాలం కన్నా దిగే ముందు వారాలే ప్రమాదమని కనెక్టికట్ చూపించింది. అక్కడ ట్రెజరర్ పాల్ సిల్వెస్టర్ 1998 ఎన్నికలో ఓడిపోయి, కొత్తవారు వచ్చేలోపు పింఛను నిధి సొమ్మును హడావుడిగా పెట్టుబడి సంస్థలకు అప్పగించారు. లంచాల వ్యవహారంలో 1999లో నేరం ఒప్పుకున్నారు. కంచే చేను మేయడమంటే అది. క్యాథ్లీన్ బ్రౌన్‌ను ఆ గాటన కట్టడం అన్యాయం.

మంగళవారం:
చిన్న పోలిక. భారతదేశంలో రాష్ట్రాల బాండ్లను రిజర్వ్ బ్యాంకే వేలం వేస్తుంది. మన పత్రికలు ‘మంగళవారం అప్పు’ అని రాసేది దాని గురించే. బ్యాంకును ఎంచుకునే అధికారం ఆంధ్రప్రదేశ్ ఆర్థిక శాఖకు గానీ తెలంగాణ ఆర్థిక శాఖకు గానీ ఆ వేలంలో లేదు. అయితే వేలానికి బయట, కార్పొరేషన్ల పేరిట తెచ్చే అప్పులకు ఈ మాట వర్తించదు.

పద్దుల మనిషి:
గుమాస్తా గారి లెక్క ఒప్పుకుంటాను, ఒక్క సవరణతో. 2008, 2009 సంవత్సరాల్లోలా మార్కెట్ బిగుసుకుపోయినప్పుడు వేలానికి ఎవరూ రాకపోవచ్చు. అప్పుడు కొనేవారిని ముందుగా వెతికిపెట్టే బ్యాంకు కావాలి, సాధారణ మదుపరులకు విడిగా గడువు ఇవ్వాలి. బేరపు అమ్మకాన్ని పూర్తిగా నిషేధిస్తే, ఆపద రోజున చేతులు కట్టుకున్నట్టే.

నదీతీరం:
నిషేధం అడగను. వేలం వదిలి బేరానికి వెళ్లినప్పుడల్లా కారణం లిఖితంగా చెప్పాలనీ, ఎంచుకున్న బ్యాంకులో పాత ట్రెజరర్ గానీ ఆ కార్యాలయపు పాత ఉద్యోగులు గానీ ఉంటే వారి పేర్లు ఆ కాగితంలోనే ఉండాలనీ అడుగుతాను. ఉద్యోగం మారడాన్ని తప్పుపట్టిన నా మొదటి మాటను ఆ మేరకు వెనక్కి తీసుకుంటున్నాను. సెంప్రా విషయంలో మాత్రం నా మాట మారదు.

బాండ్ల గుమాస్తా:
సగం పని మీరే చేసుకోవచ్చు. ప్రతి బాండుతోపాటు వెలువడే అధికారిక వివరణ పత్రం ఎమ్మా అనే వెబ్‌సైటులో ఉచితంగా దొరుకుతుంది. అందులో ‘అండర్‌రైటింగ్’ అన్న శీర్షిక కింద బ్యాంకుల పేర్లు, అవి మినహాయించుకున్న సొమ్ము ఉంటాయి. చాలావరకు ఒకే ఒక్క పేరా. నేను పని చేసినన్నాళ్లూ దాన్ని చదివి ఫోను చేసి అడిగిన పౌరుడు ఒక్కరూ లేరు.