చలికాలంలో మన గుడ్డెలుగు నిద్రపోవాలా? జూలో తిండి పెట్టి దాని నిద్ర చెడగొడుతున్నామా?

హన్మకొండ అమ్మ (డిసెంబరు 22, రాత్రి)

మా పాప నాలుగో తరగతి. చలికాలంలో ఎలుగుబంటి గుహలో పడుకుని ఎండలు వచ్చాక లేస్తుందని ఏదో పిల్లల పుస్తకంలో చదివింది. బొమ్మలో మంచు, గుహ, ముడుచుకుని పడుకున్న గోధుమరంగు ఎలుగు. మొన్న ఆదివారం హంటర్ రోడ్డులోని కాకతీయ జూకు తీసుకెళ్లాను. అక్కడ ఎలుగు నిద్రపోవడం కాదు కదా, ఒక్క నిమిషం కుదురుగా లేదు. ఒక పాత మొద్దు ఉంది. దాని తొర్రకు మూతి ఆనించి ముందు ఫూ అని ఊదింది, తర్వాత లోపలికి గుంజింది. బోరులో నీళ్లు అయిపోయాక మోటరు గాలి గుంజుతుంది చూడండి, అచ్చం ఆ చప్పుడే. అంత దూరంలో ఉన్న మాకు కూడా వినపడింది.

పాప అడిగింది: "అమ్మా, ఇది ఎందుకు పడుకోలేదు? వీళ్లు పడుకోనిస్తలేరా?" నాకు జవాబు తెలియలేదు. ఇంటికి వచ్చి అన్నం తింటూ మళ్లీ అదే అడిగింది. నిజంగా తెలిసినవాళ్లు చెప్పండి. అడవిలో మన ఎలుగు చలికాలమంతా నిద్రపోతుందా? జూలో రోజూ తిండి పెట్టి ఆ నిద్ర లేకుండా చేస్తున్నామా?

పంజరం వద్దు (డిసెంబరు 22, రాత్రి)

చేస్తున్నాం మేడమ్. పాప సరిగ్గా అడిగింది. చలిదేశాల జూలలో ఏడాది పొడుగునా తిండి దొరికే ఎలుగులు చాలావరకు నిద్రకు పోవు. ఇది అందరూ ఒప్పుకునే మాటే. అదే జాతి బయట అడవిలో ఐదారు నెలలు నిద్రపోతుంది. అంటే ఆ నిద్రకు అడ్డం వస్తున్నది మనం పెట్టే గిన్నె. మన జూల సంగతి వేరే ఎందుకు అవుతుంది? నవంబరు నుంచి తిండి తగ్గించి, చీకటిగా ఉండే ఒక గూడు కట్టిస్తే దాని శరీరం దాని లెక్క అది చూసుకుంటుంది. సందర్శకులకు కనబడాలని దాన్ని మెలకువగా ఉంచడం నాకు న్యాయంగా అనిపించదు.

జీవశాస్త్రం సార్ (డిసెంబరు 23, ఉదయం)

మీ మంచి మనసు అర్థమైంది కానీ, తిండి తగ్గించమనే మాట మాత్రం వెనక్కి తీసుకోండి. మన గుడ్డెలుగుకు తిండి ఆపితే అది నిద్రపోదు, చిక్కి శల్యమవుతుంది.

ప్రపంచంలో ఎలుగు జాతులు ఎనిమిది. అన్నీ చలికాలం నిద్రపోవు. అమెరికా నల్ల ఎలుగు, గోధుమ ఎలుగు నిద్రపోతాయి. కశ్మీర్‌లోని హిమాలయ నల్ల ఎలుగు కూడా అంతే. ధ్రువపు ఎలుగులో అయితే కడుపుతో ఉన్న ఆడవి మాత్రమే మంచులో గూడు చేసుకుని నెలల తరబడి లోపల ఉంటాయి, మిగతావి చలికాలమంతా వేటాడుతూనే ఉంటాయి. చైనా పాండా నిద్రపోదు, వెదురు తిని అంత కొవ్వు కూడబెట్టుకోవడం దానివల్ల కాదు. మలయా అడవుల్లోని చిన్న ఎలుగు నిద్రపోదు. మన గుడ్డెలుగు కూడా నిద్రపోదు.

ఇక్కడ అసలు కారణం చలి కాదు, తిండి. అలాస్కాలో నేల గడ్డకట్టాక ఎలుగుకు తినడానికి ఏమీ మిగలదు. అందుకే శరదృతువులో రోజుకు ఇరవై గంటలదాకా తింటూనే ఉండి, ఆ కొవ్వు మీద నెలలు గడిపేస్తుంది. మన దగ్గర? ములుగు అడవిలో జనవరిలో ఎంత చలి పెట్టినా పుట్టలోని చెదలు ఎక్కడికీ పోవు. పై రెండు ముందుపళ్లు లేకుండా పుట్టిన జంతువు ఇది. ఆ ఖాళీలోంచి, పొడుగాటి పెదవులతో, ముక్కుపుటాలు మూసుకుని చెదలను పీల్చేస్తుంది. మీ పాప విన్న చప్పుడు అదే మేడమ్. ఆ తిండి పన్నెండు నెలలూ దొరుకుతుంది. ఇక నిద్ర దేనికి?

ఇంకో సంగతి. ఇంగ్లిష్‌లో దీన్ని స్లాత్ బేర్ అంటారు కాబట్టి సోమరి జంతువని కొందరు అనుకుంటారు. 1791లో జార్జ్ షా అనే ఇంగ్లిష్ శాస్త్రవేత్త, పొడుగు గోళ్లు, లేని పళ్లు చూసి దక్షిణ అమెరికాలో చెట్లకు వేలాడే స్లాత్‌కు ఇది చుట్టమని పొరబడ్డాడు. పేరు అలా అంటుకుపోయింది.

తాడ్వాయి తమ్ముడు (డిసెంబరు 23, మధ్యాహ్నం)

సార్, మీరు చదివినవారు, కాదనను. కానీ మా పెద్దబాపు కండ్లారా చూసిన సంగతి ఒకటి చెప్తా. తాడ్వాయి అవతల గుట్ట మీద రెండు పెద్ద బండల సందులో ఒక ఎలుగు ఉండేది. పుష్యమాసంలో పది పదిహేను రోజులు అది బయటికి రానేలేదట. ఆ చుట్టుపక్కల పుట్టలు ఒక్కటి కూడా తవ్వినట్టు లేదు. పెంట లేదు. కట్టెలకు పోయేవాళ్లు ఆ దారి ఇడిచిపెట్టిండ్రు. అది లోపలే ఉందని వాసనతోనే తెలుస్తుందట. తిండి లేదు, నీళ్లు లేవు, కదలిక లేదు. అది నిద్ర కాకపోతే ఏంది? మా ఊళ్లో పెద్దలంతా "చలికి పండుకున్నది" అనే అంటారు. అడవిలో పుట్టి పెరిగినోళ్ల మాట తప్పంటే ఎట్ల ఒప్పుకుంట?

అడవి డ్యూటీ (డిసెంబరు 23, సాయంత్రం)

తమ్ముడూ, మీ పెద్దబాపు చూసింది నూటికి నూరుపాళ్లు నిజం. దానికి పెట్టిన పేరులోనే తేడా. నేను ముప్పై ఏళ్లు అటవీశాఖలో బీట్ తిరిగి రిటైరైనవాణ్ని. ఏటూరునాగారం, పాకాల వైపే ఎక్కువకాలం చేశాను.

అది తల్లి. మన దగ్గర ఎలుగులు ఎండాకాలం చివర జతకడతాయి, ఆడది నవంబరు, జనవరి మధ్య ఈనుతుంది. ఈనడానికి ఇట్లాంటి బండల సందే చూసుకుంటుంది. ఒకటి లేదా రెండు పిల్లలు, మూడు కావడం అరుదు. పుట్టినప్పుడు వాటికి కండ్లు తెరుచుకోవు, మూడు వారాలకు గానీ తెరవవు. అందుకే మొదట్లో తల్లి వాటిని ఇడిచి ఎటూ పోదు. తిండి దాదాపు మానేస్తుంది. బయట చూసేవాళ్లకు అది నిద్రలాగే ఉంటుంది. కానీ లోపల ఆ తల్లి పూర్తి మెలకువతో ఉంటుంది, పాలిస్తుంటుంది, చిన్న చప్పుడైనా వింటుంది.

దీన్ని గట్టిగా చెప్పడానికి ఒక కారణం ఉంది. "చలికి పండుకున్నది, లేవదు" అనుకుని తేనెకో, కట్టెకో ఆ బండ దగ్గరికి పోయేవాళ్లను నేను చూశాను. గుడ్డెలుగు దగ్గరికొచ్చేదాకా మనిషిని గమనించకపోవచ్చు, గమనించాక మాత్రం పారిపోవడం కంటే మీదపడటమే ఎక్కువ. పులి పక్కకు తప్పుకుంటుంది, ఇది తప్పుకోదు. పిల్లలున్న తల్లి అయితే చెప్పనక్కర్లేదు. మొహం మీదికే వస్తుంది. అట్లా గాయపడిన మనిషిని జీపులో పడుకోబెట్టి ములుగు దాకా తీసుకొచ్చిన రాత్రి నాకు ఇంకా కండ్ల ముందే ఉంది. కాబట్టి ఊళ్లో ఆ మాట మారాలి. పండుకున్నది అనొద్దు, ఈనింది అనండి.

తాడ్వాయి తమ్ముడు (డిసెంబరు 23, రాత్రి)

సార్, మీ అనుభవానికి దండం. కానీ లోపలికి ఎవరూ పోయి చూడలేదు కదా. అది మగది అయ్యుంటే? పిల్లల సంగతి మా పెద్దబాపు ఎప్పుడూ చెప్పలేదు. సాక్ష్యం లేకుండా తల్లి అని ఎట్ల అంటారు?

గుట్ట కింది రైతు (డిసెంబరు 24, ఉదయం)

మాది కరీంనగర్ దగ్గర ఊరు. లోపల ఏమున్నదో నాకు తెలవదు గానీ, బయట ఏం తిరుగుతున్నదో నన్నడగండి. సంక్రాంతి దాటి యాసంగి మక్క కంకి పాలు పట్టే టైంకు, మంచం మంచె మీద వేసుకుని డబ్బా కొడుతూ కాపలా కాస్తాం. పందికొకరు, ఎలుగుకొకరు. వణికించే చలిలోనే వస్తుంది. పొద్దున పోయి చూస్తే ఒడ్డు మీద పెంట నిండా రేగు గింజలు. రేగుపండ్లు చలికాలానివే కదా. నిద్రపోయే జంతువు రేగుపండ్లు ఎట్ల తింటది?

మా దగ్గర గుట్టలు గ్రానైట్‌కు పోతున్నాయి. అది ఉండే బండలే లారీలెక్కి పోతుంటే ఎక్కడికి పోవాలె? అందుకే అప్పుడప్పుడు టౌన్‌లోకి కూడా వస్తున్నది. దాని నిద్ర గురించి మాట్లాడుకునే ముందు, దానికి పండుకునే జాగ మిగిలిందా అన్నది నా బాధ.

పంజరం వద్దు (డిసెంబరు 24, మధ్యాహ్నం)

మన గుడ్డెలుగు విషయంలో నేను పొరబడ్డాను. తిండి తగ్గించమన్న మాట వెనక్కి తీసుకుంటున్నా. రైతన్న చెప్పిన రేగు గింజలు చాలు నాకు.

కానీ సగం ప్రశ్న అట్లాగే ఉంది. హైదరాబాద్ జూలో హిమాలయ నల్ల ఎలుగును చూశాను, ఛాతీ మీద తెల్లటి నెలవంక గుర్తు. అది కొండల్లో నిద్రపోయే జాతే కదా? డిసెంబరులో అక్కడ మామూలుగా తిరుగుతోంది. దాని సంగతేంటి సార్? పుట్టుకతో వచ్చిన అలవాటును మనం తుడిచేసినట్టు కాదా?

జీవశాస్త్రం సార్ (డిసెంబరు 24, సాయంత్రం)

ఇది మంచి ప్రశ్న. దీనికి అలాస్కాలో చేసిన ఒక పరిశోధన చెప్పాలి. 2011లో అచ్చయింది. ఊళ్లలోకి వస్తున్నాయని పట్టుకున్న ఐదు నల్ల ఎలుగులను తెచ్చి, అడవిలో చెక్కపెట్టెల్లాంటి గూళ్లలో గడ్డి పరిచి ఉంచారు. లోపల కెమెరాలు, ఒంట్లో కొలిచే పరికరాలు. తిండి లేదు. అవి చక్కగా సుప్తావస్థలోకి, అంటే ఆ చలికాలపు నిద్రలోకి వెళ్లాయి. ఒంటి వేడి 30 నుంచి 36 డిగ్రీల మధ్యకే తగ్గింది, కానీ శరీరం ఖర్చుచేసే శక్తి మామూలులో పావు వంతుకు పడిపోయింది. వసంతంలో లేచి బయటికి వచ్చాక కూడా రెండు మూడు వారాలు ఆ ఖర్చు సగం దగ్గరే ఉంది. మనిషి చేతిలో ఉన్నా ఎలుగు నిద్రపోగలదని దీన్నిబట్టి తెలుస్తోంది. వాషింగ్టన్ స్టేట్ యూనివర్సిటీలో పెంచుతున్న గ్రిజ్లీలు (అక్కడి గోధుమ ఎలుగులు) కూడా ఏటా చలికాలం నిద్రపోతాయి. నిద్రాకాలంలో వాటికి తేనె కలిపిన నీళ్లు తాగించి, ఇన్సులిన్ ఎలా మారుతుందో కూడా చూశారు. అంత కొవ్వు పెట్టుకుని, నెలలు కదలకుండా ఉండి కూడా వాటికి షుగర్ జబ్బు రాదు. అది మనుషులకు పనికొచ్చే రహస్యం.

దీనికి రెండోవైపు కూడా ఉంది. అమెరికాలో ఊళ్ల పక్కన చెత్తకుండీల తిండికి అలవాటుపడిన నల్ల ఎలుగులు, పంజరంలో లేకపోయినా, నిద్ర తగ్గించుకుంటాయి. పూర్తి స్వేచ్ఛలో ఉన్నవే. అంటే ఈ నిద్ర గడియారంలా తప్పనిసరిగా మోగేది కాదు. తిండి కరువుకు శరీరం కనిపెట్టిన ఉపాయం. కరువు రాకపోతే ఉపాయం అక్కర్లేదు. హైదరాబాద్‌లోని హిమాలయ ఎలుగుకు మంచూ లేదు, కరువూ లేదు. ఇదే జాతి వెచ్చటి ప్రాంతాల్లో ఉన్నచోట ఈనే ఆడవి తప్ప మిగతావి పెద్దగా నిద్రపోవు.

పంజరం వద్దు (డిసెంబరు 24, రాత్రి)

అక్కర్లేదు అన్నది మీ మాట సార్. వాడకపోతే నష్టం లేదని దానర్థం కాదు. తరాల తరబడి ఆ కొవ్వు, ఆ నిద్ర కోసం తయారైన శరీరం అది. మీరు చెప్పిన ఇన్సులిన్ సంగతే చూడండి. కొవ్వు పెంచే ఆకలి అట్లాగే ఉండి, దాన్ని కరిగించే నిద్ర లేకపోతే? చలిదేశాల జూలు చలికాలం తిండి తగ్గించి, గూడు ఇచ్చి, పడుకుంటానంటే పడుకోనివ్వాలి. ఈ ఒక్క విషయంలో నేను మారను.

జీవశాస్త్రం సార్ (డిసెంబరు 24, రాత్రి)

చలిదేశాల్లో, చలిదేశపు జాతికి, గూడు ఇచ్చి ఎంపిక దానికే వదిలేయాలంటే నాకు అభ్యంతరం లేదు. కొన్ని జూలు అలా చేస్తున్నాయి కూడా. నా గొడవంతా ఆ పుస్తకంలోని మంచు బొమ్మను తెచ్చి వరంగల్ ఎలుగుకు తగిలించడం గురించే.

హన్మకొండ అమ్మ (డిసెంబరు 25, ఉదయం)

అందరికీ చాలా థాంక్స్. రాత్రి పాపను కూర్చోబెట్టి ఇదంతా చదివి వినిపించాను. తల్లి ఎలుగు పిల్లలను పట్టుకుని కూర్చుంటుందన్న దగ్గర "అంటే నువ్వు తమ్ముడు పుట్టినప్పుడు అమ్మమ్మోళ్ల ఇంట్లో ఉన్నట్టా?" అంది. అంతే నాన్నా అన్నాను. తర్వాత పుస్తకం తెచ్చి, ఆ బొమ్మ కింద పెన్సిల్‌తో "ఇది మంచు ఊరి ఎలుగు" అని రాసుకుంది. వాళ్ల టీచర్ ఏమంటారో చూడాలి. అడవి డ్యూటీ సార్‌ను ఒకటి అడగమంది: పిల్లలు బయటికి వచ్చాక ఎట్లా నడుస్తాయి?

అడవి డ్యూటీ (డిసెంబరు 25, మధ్యాహ్నం)

నడవవు తల్లీ, ఎక్కుతాయి. రెండు మూడు నెలల వయసుకు బండలోంచి బయటికి వస్తాయి. అప్పుడు అమ్మ వీపు మీద, భుజాల దగ్గర పొడుగు బొచ్చు పట్టుకుని కూర్చుంటాయి. అట్లా వీపు మీద ఊరేగేది ముఖ్యంగా మన గుడ్డెలుగు పిల్లలే. తొమ్మిది నెలలు వచ్చేదాకా బరువైనా సరే ఎక్కుతూనే ఉంటాయి. అమ్మ పుట్ట తవ్వేటప్పుడు దిగుతాయి, ఏదైనా అలికిడి అయితే ఒక్క ఉరుకున మళ్లీ పైకి. ఇప్పపువ్వు రాలే టైంకు పొద్దున్నే చెట్టు కింద అట్లా చూశాను, ఒకదాని మీద రెండు.

తాడ్వాయి తమ్ముడు (డిసెంబరు 26, రాత్రి)

ఇయ్యాల పెద్దబాపుకు ఫోన్ చేసిన. పిల్లలున్నయా అని ఎవ్వరూ అడగలేదు కాబట్టి ఆయన చెప్పలేదట. ఆ ఏడు శివరాత్రి ముందు అదే బండ దగ్గర వాగు ఇసుకలో అడుగులు చూసిండట. పెద్దయి ఒక వరుస. చిన్నయి నీళ్ల ఒడ్డు కాడ మాత్రమే ఉన్నయట, అటు ఇటు ఎక్కడా లేవు. చిన్నది గాలిలకెళ్లి వచ్చి నీళ్లు తాగిపోయిందా అని అప్పుడు ఆశ్చర్యపోయిండట. వీపు మీది సంగతి నేను చెప్తే ఫోన్‌లో కాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత, "అయితే అది నీళ్లకు దిగి మళ్లీ ఎక్కింది బిడ్డా" అన్నడు.