మన గోదావరి జిల్లాల్లో లావా రాయి ఉందంటున్నారు, నిజమేనా?

కోనసీమ నాన్న: మాది అమలాపురం సైడ్ అండి, కొబ్బరితోటలు, వరిచేలు తప్ప గుట్ట కూడా కనపడదు. మా వాడు ఎనిమిదో క్లాసు, ఇండియాలో అగ్నిపర్వతాలు ఎక్కడున్నాయ్ అని ఒకటే ప్రశ్నలు. దగ్గర్లో చూపించడానికి ఏమన్నా ఉందా?

సముద్రం పిచ్చి: యాక్టివ్‌గా ఉన్నది అండమాన్‌లో బారెన్ ఐలాండ్ ఒక్కటేనండి. చాలా ఏళ్లు నిద్రపోయి 1991లో మళ్లీ లేచింది. నీటిపైన 350 మీటర్లే గానీ సముద్రం అడుగునుంచి చూస్తే 2 కిలోమీటర్ల పైమాటే. అండమాన్‌లోనే ఇంకో అగ్నిపర్వత దీవి నార్కొండం, 710 మీటర్లు, అది ఇప్పుడు నిద్రపోతోంది.

రాళ్ల మాస్టారు: అండమాన్ దాకా ఎందుకండీ, కొవ్వూరు దాటి పంగిడి, గౌరీపట్నం క్వారీలకి తీసుకెళ్లండి! మన రోడ్లకేసే ఆ నల్లకంకర 6.6 కోట్ల ఏళ్ల నాటి లావా, పడమటి కనుమల వైపు పుట్టి పాత నదీలోయల వెంట దాదాపు వెయ్యి కిలోమీటర్లు పారి ఇక్కడికొచ్చిందని చాలామంది జియాలజిస్టుల మాట. లావా పొరల మధ్య సున్నపురాయి ఉంటది, దగ్గరగా చూస్తే అందులో నత్తగుల్లలు అచ్చుపోసినట్టు కనపడతాయి, నాకైతే మన జిల్లాలో ఇంతకన్నా గొప్ప చోటు లేదు. బ్లాస్టింగ్ జరుగుద్ది, పర్మిషన్ అడిగే లోపలికెళ్లండి.

కోనసీమ నాన్న: థాంక్స్ మాస్టారూ! పాపికొండలు కూడా లావాయేనా?

రాళ్ల మాస్టారు: కాదండి, అవి తూర్పు కనుమలు, ఈ లావా కంటే ఎన్నో రెట్లు పాతవి.