తెల్లదొర వేషం పడింది, ఆర్ఆర్ఆర్ గవర్నరు గురించి ఎవరైనా చెప్పండి

నాగావళి గట్టు, శ్రీకాకుళం:
ఏడు రోడ్ల కూడలి దగ్గర కిరాణా కొట్టు నాది. రాత్రిళ్లు నాటకం. మనిషిని ఆరడుగులున్నానని ఇరవై ఏళ్లుగా జమీందారో, ఎస్సైయో, యముడో. ఈసారి తెల్లదొర. ఉన్నవి రెండే సీన్లు. రిహార్సల్లో మొహానికి పౌడరు దట్టించి, సోలా టోపీ పెట్టి, గొంతు చిరిగేలా అరిచీసాను. చూడ్డానికొచ్చిన మా ఆవిడ నవ్వాపుకోలేక బయటికి పోయింది. మరేటి చెయ్యమంటారు? ఆర్ఆర్ఆర్‌లో గవర్నరు స్కాట్ పెద్దగా అరిచినట్టు కూడా గుర్తులేదు, అయినా ఒళ్లు జలదరించింది. ఎవరాయన? ఎక్కడ నేర్చాడు?

గంటస్తంభం నీడ, విజయనగరం:
అన్నా, రే స్టీవెన్‌సన్. 1964లో ఉత్తర ఐర్లండ్‌లోని లిస్బర్న్‌లో పుట్టాడు, పెరిగింది ఇంగ్లండ్‌లో న్యూకాజిల్ వైపు. ముందు ఇంటీరియర్ డిజైనరు. లండన్లో జాన్ మాల్కోవిచ్ ఆడిన నాటకం చూసి దారి మార్చాడు. బ్రిస్టల్ ఓల్డ్ విక్ థియేటర్ స్కూల్లో చదువు అయ్యేసరికి 29 ఏళ్లు. మన దగ్గరైతే ఆ వయసుకి "ఇంకేటి నేరుస్తావురా" అంటారు. తర్వాత బ్రిటన్ టీవీ సీరియళ్లలో చిన్నాచితకా వేషాలు. 2000లో యార్క్‌లో పెద్ద చర్చి లోపల ఆడిన బైబిల్ నాటకాల్లో ఏసు. ఏసు నుంచి స్కాట్ దొర దాకా, చూడు!

అసలు నిలబెట్టింది 2005లో వచ్చిన రోమ్ సీరియల్. అందులో టైటస్ పులో అనే మామూలు సిపాయి. తాగుడు, కొట్లాట, పసిమనసు. అప్పటికి 41. ఆ పైన మార్వెల్ కామిక్స్ సినిమాల్లో పనిషరూ, థోర్‌లో పెట్టుడు పొట్టతో వోల్‌స్టాగ్ అనే యోధుడూ. నాకైతే డెక్స్‌టర్ అనే సీరియల్ ఏడో సీజనే గొప్ప. తను ప్రేమించిన మనిషిని చంపినవాడితోనే బార్లో కూర్చుని ఆ ప్రేమ సంగతి నెమ్మదిగా చెబుతాడు.

చీపురుపల్లి చిన్నోడు:
ఆర్ఆర్ఆర్‌లో తాళ్లకి వేలాడే ఫైటు 56 ఏళ్ల వయసులో వెనకాడకుండా చేశాడని సినిమా వాళ్లే రాశారు. 2023 మేలో ఇటలీలో పోయాడు, 59 నిండడానికి నాలుగు రోజుల ముందు. ఆయన ఆడిన స్టార్ వార్స్ సీరియల్ 'అసోకా' ఆయన పోయాకే వచ్చింది.

రిటైర్డ్ మాస్టారు, బొబ్బిలి:
బాబూ, మొదట్లో తూటా సీను మళ్లీ చూడు. మల్లి అనే పిల్ల తల్లి మీద గురిపెట్టిన సిపాయిని స్కాట్ ఆపుతాడు. ఈ తూటా ఇంగ్లండ్‌లో తయారైంది, ఓడెక్కి సముద్రాలు దాటి వచ్చింది, ఖరీదింత, ఈవిడ మీద దండగ చేస్తావా అని లెక్క చెబుతాడు. కోపం లేదు. అవతల సిపాయి చెట్టుకొమ్మ అందుకుంటాడు. నీది కిరాణా కొట్టు కదా, అరువు అడిగినవాడికి కందిపప్పు ధర ఎలా చెబుతావో అలా చెప్పు. చెయ్యి కూడా ఊపకు.

నాగావళి గట్టు, శ్రీకాకుళం:
మాస్టారూ, దండాలు. రాత్రి కొట్టు కట్టీసాక తూకం రాయి ఒకటి వేళ్ల మధ్య తిప్పుతూ నా డైలాగు చెప్పాను. మా ఆవిడ నవ్వలేదు. కాసేపాగి "ఆ పౌడరు మానీండి" అంది. పౌడరు మానీసాను గాని టోపీ నా తలకి పట్టట్లేదు. విజయనగరంలో అద్దెకి దొరుకుతాదా?