ఏడాదికో క్లబ్ మారే మిడ్‌ఫీల్డర్: స్పెయిన్ కింది అంచెల్లో అది ఎదుగుదలా, అరుగుదలా?

నడిమి గడి:
మొన్న ఇంకో చర్చలో ఒకరు రాశారు: "పదేళ్ళలో ఎనిమిది క్లబ్బులు తిరిగాడంటే ఆ మిడ్‌ఫీల్డర్‌ని ఏ క్లబ్బూ నమ్మలేదనే అర్థం." మాట కటువుగా ఉన్నా చాలావరకు నిజమనే నా అభిప్రాయం. అందుకే విడిగా చర్చకు పెడుతున్నాను.

ఒక కుర్రాణ్ణి ఊహించుకుందాం. 23 ఏళ్ళవాడు. పెద్ద క్లబ్ బి జట్టులో, అంటే ఫిలియల్‌లో ఆడాడు. జూన్ 30న ఒప్పందం అయిపోయింది. డిఫెన్స్ ముందు నిలబడే పివోతె. రెండు పిలుపులొచ్చాయి. ఒకటి మూడో అంచె ప్రిమేరా ఫెదెరాసియోన్ నుంచి: ఏడాది ఒప్పందం, ఆ స్థానానికి వరుసలో మూడోవాడు. రెండోది నాలుగో అంచె సెగుండా ఫెదెరాసియోన్ నుంచి: రెండేళ్ళ ఒప్పందం, మొదటి రోజు నుంచే పదకొండుమందిలో చోటు. నేనైతే రెండోదే సరైనదంటాను. నాలుగో అంచెలో సీజన్‌కు 34 మ్యాచ్‌లు. అందులో 30 పూర్తిగా ఆడితే 2,700 నిమిషాలు. పై అంచెలో మూడోవాడిగా కూర్చుంటే చివరి పావుగంటలు పోగేసుకుని 500 నిమిషాలు దక్కినా గొప్పే. ఈ స్థానానికి ఆటగాణ్ణి వెతికేవాళ్ళు ముందు చూసేది నిమిషాలే.

ఒకే చోట కుదురుకున్నవాళ్ళని చూడండి. అలెక్స్ గ్రనెల్ 2014లో ప్రాత్ అనే చిన్న క్లబ్ నుంచి జిరోనాకు వచ్చాడు. 2017లో ఆ జట్టుతోనే లా లిగా చేరాడు, కెప్టెన్‌గా ఆడాడు. ఐతోర్ సాన్స్ 2012లో తెనెరిఫేకు వచ్చినప్పుడు ఆ జట్టు మూడో అంచెలో ఉంది. ఏడాదికే పైకి లేచింది, ఆయన పదేళ్ళకు పైగా అక్కడే ఉన్నాడు. ఇద్దరూ ఎదిగింది ఊళ్ళు మారి కాదు.

ఆరో నంబర్:
నడిమి గడి గారూ, మీ వాదనకు ఆట వైపు నుంచి కాస్త బలం చేకూరుస్తాను. స్ట్రైకర్ కొత్త జట్టుకు వెళ్తే గోల్ ఎక్కడుందో వెతుక్కోనక్కర్లేదు. పివోతె పని అలా కాదు, చుట్టూ ఉన్న ఐదుగురి అలవాట్ల మీద అతని ఆట నిలబడుతుంది. ఎడమ సెంటర్‌బ్యాక్‌ది ఏ కాలు? కుడికాలివాడైతే బంతి లోపలికే వస్తుంది, అంటే పివోతె ఒళ్ళు ముందే తిప్పి ఉంచుకోవాలి. గోలీ (గోల్‌కీపర్) ఒత్తిడిలో పొట్టిగా ఇస్తాడా, పొడుగ్గా కొడతాడా? పొడుగ్గా కొట్టేవాడైతే పివోతె బంతి అడగడానికి కిందికి దిగడం దండగ, రెండో బంతి, అంటే గాల్లో పోటీ తర్వాత చెదిరిన బంతి, పడే చోటికి పది పదిహేను గజాలు ముందుగా వెళ్ళి ఉండాలి. ఫుల్‌బ్యాక్ ఇద్దరూ ఒకేసారి పైకి వెళ్తారా? అలా వెళ్తే ఎదురుదాడిలో ఖాళీ అయ్యేది ఇతని పక్కనే.

ఇవన్నీ ఒంటికి పట్టడానికి ఎనిమిది, పది మ్యాచ్‌లు పడతాయి. ఏడాది ఒప్పందంలో అంటే అప్పటికి అక్టోబర్ దాటిపోతుంది. మూడో అంచెలో ఒక్కో గ్రూపులో 20 జట్లకు ఐదు కిందికి పోతాయి. రెండు నుంచి ఐదో స్థానం దాకా పైకి వెళ్ళేందుకు ప్లేఆఫ్ ఉంటుంది. మధ్యలో ఊపిరి పీల్చుకునే జట్లు తక్కువ కాబట్టి కోచ్‌లు తొందరగా పోతారు. కొత్త కోచ్ వస్తే నేర్చుకున్నదంతా మళ్ళీ మొదటికి.

ఇంకోటి, నాలుగో అంచెలో కృత్రిమ గడ్డి మైదానాలు చాలా ఉన్నాయి. తడిపితే బంతి జారిపోతుంది, ఎండిపోతే పట్టేస్తుంది. పాస్ బరువు వారం వారం మార్చుకోవాలి. సహజ గడ్డి మీద ఆడేచోట సొంత మైదానం మ్యాచ్‌లకైనా ఆ గొడవ ఉండదు. నడిమి గడి గారు చెప్పిన రెండో పిలుపుకు ఊ అనే ముందు ఆ క్లబ్ మైదానం ఏదో, ఎంత వెడల్పో కనుక్కోవాలి. ఇరుకు మైదానంలో రెండేళ్ళు గాలి బంతులకు తలలిచ్చిన పివోతె వీడియో చూసి పై అంచెలో ఎవరూ పిలవరు.

విజయనగరం వింగర్:
ఇద్దరూ ఒక విషయం వదిలేశారు. మారడం, మారకపోవడం ఆటగాడి చేతిలో ఉన్నట్టే మాట్లాడుతున్నారు.

సెగుండా బే (2021 దాకా మూడో అంచె పేరు) రోజుల నుంచి వచ్చిన లెక్క చూడండి. జట్టుకు 22 ఫిచాలు, అంటే నమోదు చీటీలు. అందులో 23 దాటినవాళ్ళవి 16కు మించకూడదు. మిగతావి కుర్రాళ్ళకే. 16 సీనియర్ చీటీలను పంచి చూస్తే ఒక గోలీ, ఆరుగురు డిఫెండర్లు, ముందు ఐదుగురు పోగా మధ్యలో మిగిలేవి నాలుగు. ఆ నాలుగిట్లో ఒకటి అసలైన పివోతెకి, ఒకటి గోల్స్ కొట్టే ఇంతెరియోర్‌కి, అంటే ముందుకెళ్ళే మిడ్‌ఫీల్డర్‌కి, ముందే రాసిపెట్టి ఉంటాయి. మూడో పివోతెగా 22 ఏళ్ళ కుర్రాడే దొరుకుతుంటే, సీనియర్ చీటీ ఖర్చు లేకుంటే, 24 ఏళ్ళవాణ్ణి క్లబ్ ఎందుకు ఉంచుకుంటుంది? నిన్నటి దాకా కుర్రాడిగా లాభం తెచ్చినవాడే పుట్టినరోజు దాటగానే చీటీకి బరువవుతాడు. అతని ఆట ఏమీ తగ్గలేదు. ఏడాదికో క్లబ్ మారినవాళ్ళ జాబితాలో సగం కారణం ఇదే. దాన్ని పట్టుకుని "ఎవరూ నమ్మలేదు" అనడం ఆ మనిషికి అన్యాయం.

ఇక నాలుగో అంచెకు దిగడం గురించి. దిగినవాడు పైకి రావడం అసాధ్యం కాదు. హోసే లూయిస్ మొరాలెస్ 23 ఏళ్ళ వయసులో ఫ్యూన్లబ్రాదా తరఫున అప్పటి నాలుగో అంచె తెర్సేరాలో ఆడాడు. 2011లో లెవాంతె బి జట్టుకు వెళ్ళాడు. 2013-14లో అరువు మీద ఐబార్‌కు ఆడి ఆ జట్టు లా లిగాకు చేరడంలో పాలుపంచుకున్నాడు. లా లిగాలో మొదటి మ్యాచ్ ఆడేసరికి 27 ఏళ్ళు. అయితే ఆయన మారుతూ మెట్లు పైకే ఎక్కాడు. చూడాల్సింది ఎన్ని క్లబ్బులని కాదు, ఏ మెట్టు నుంచి ఏ మెట్టుకని.

ఆరో నంబర్:
మొరాలెస్ గీత పక్కన పరిగెత్తేవాడన్నా. ఒక్కణ్ణి దాటి క్రాస్ వేస్తే పది సెకన్ల వీడియోలో కనబడిపోతాడు. పివోతె చేసే మంచి పని వీడియోలో కనబడదు, అతను సరైన చోట ఉన్నాడు కాబట్టి ఎదుటివాడు ఆ పాసే వేయడు. ఇద్దరినీ ఒకే గాటన కట్టొద్దు. చీటీల లెక్క మాత్రం ఒప్పుకుంటాను, అది నా దృష్టికి రాలేదు.

కాగితాల శాస్త్రి:
ఏడాదా, రెండేళ్ళా అని మీరు వాదిస్తున్నారు గానీ అసలు కిటుకు ఒప్పందంలోని చిన్న వాక్యాల్లో ఉంది. తరచుగా కనిపించేది "ఒకటి ప్లస్ ఒకటి". ఉదాహరణకు కనీసం 45 నిమిషాల చొప్పున 25 మ్యాచ్‌లు ఆడితే రెండో ఏడాది తనంతట తానే ఖాయం అని ఉంటుంది. వినడానికి బావుంటుంది. జట్టు ఏప్రిల్‌కల్లా కిందికి పోయే చోటుకు చేరితే ఏమవుతుంది? 23, 24 మ్యాచ్‌ల దగ్గర ఆటగాడు బెంచి మీదికి వెళ్తాడు, లేదా 44వ నిమిషానికి బయటికి వస్తాడు. కావాలనే చేశారని రుజువు చేయడం కష్టం. అందుకని మ్యాచ్‌ల సంఖ్య కాకుండా, ఆటగాడు అందుబాటులో ఉన్న మ్యాచ్‌లలో శాతం రాయించుకోవాలి. గాయం, సస్పెన్షన్ రోజులు లెక్కలోంచి తీసేయాలి. పైకి వెళ్తే జీతం ఎంత, కిందికి పోతే ఎంత, కిందికి పోతే ఆటగాడు ఉచితంగా వెళ్ళిపోవచ్చా, ఈ మూడూ విడివిడిగా ఉండాలి. "పరస్పర అంగీకారంతో" అని ఉంటే ఏమీ లేనట్టే.

స్పెయిన్‌లో వృత్తి ఆటగాళ్ళ ఉద్యోగాలకు 1985 నాటి 1006వ రాజ శాసనం ఉంది. దాని ప్రకారం ఒప్పందం ఎప్పుడూ గడువు ఉన్నదే. శాశ్వత ఉద్యోగం అన్న మాటే లేదు. గడువు ముగిశాక క్లబ్ కొత్త ఒప్పందం ఇవ్వకపోతే ఏడాదికి 12 రోజుల జీతం చొప్పున పరిహారం వస్తుందని 2019లో సుప్రీం కోర్టు చెప్పింది. చాలామంది కుర్రాళ్ళు ఇది అడగకుండానే, "ఇక బాకీ ఏమీ లేదు" అనే ఫినికీతో కాగితం మీద సంతకం పెట్టి వచ్చేస్తారు. అన్యాయంగా మధ్యలో తీసేస్తే ఏడాదికి కనీసం రెండు నెలల జీతం. కానీ తీసేసిన రోజు నుంచి 20 పనిదినాల్లో ఫిర్యాదు పడాలి. ఆ గడువు దాటితే ఎంత న్యాయమున్నా తలుపు మూసుకుపోతుంది.

అదే శాసనంలో ఇంకో రెండున్నాయి. జట్టుతో శిక్షణకు రానివ్వకుండా విడిగా పరిగెత్తించడం కుదరదు, శిక్ష గానీ గాయం గానీ ఉంటే తప్ప. సీజన్ మొత్తం ఒక్క అధికారిక మ్యాచ్‌లోనూ దింపకపోతే, అరువు మీద వేరే క్లబ్‌కు వెళ్తానంటే క్లబ్ ఒప్పుకోవాలి.

నాలుగో, ఐదో అంచెల్లో అతిపెద్ద ఉచ్చు అమెచ్యూర్ చీటీ. ఖర్చుల కింద ఇస్తున్నామని చెప్పి నెలనెలా జీతంలా చేతికిస్తారు, సామాజిక భద్రతలో చేర్చరు. మోకాలు పోతే ఆ రోజు తెలుస్తుంది తేడా. నిజంగా ఖర్చులకు మించి క్రమంగా డబ్బు అందుతుంటే కాగితం మీద ఏమని రాసినా చట్టం దృష్టిలో అతను వృత్తి ఆటగాడే. రుజువు కోసం ప్రతి చెల్లింపూ బ్యాంకు ద్వారా వచ్చేలా చూసుకోవాలి. నడిమి గడి గారి రెండేళ్ళ ఒప్పందం ఇలాంటిదైతే దానికన్నా పై అంచెలో ఏడాది ఒప్పందమే నయం.

విజయనగరం వింగర్:
శాస్త్రి గారు జీతాల ఊసెత్తారు కాబట్టి ఒకటి. రెండేళ్ళ ఒప్పందం విలువ క్లబ్ బతికున్నంత కాలమే. రేవుస్ అనే క్లబ్‌ను జీతాల బకాయిల మీద 2019 జనవరిలో, సీజన్ మధ్యలో, రెండో అంచె నుంచి వెలివేశారు. ఎక్స్‌త్రెమదూరా అనే ఇంకో క్లబ్ 2021-22లో ఆటగాళ్ళ సమ్మెతో మొదలై మధ్యలోనే ఆగిపోయింది. కుదురు కావాలనుకునేవాడు ముందు క్లబ్ చరిత్ర చూడాలి: గత మూడేళ్ళలో యజమాని మారాడా, ఆటగాళ్ళ సంఘం ఏఎఫ్‌ఈ దగ్గర ఫిర్యాదులున్నాయా, జనవరిలో ఎంతమంది వెళ్ళిపోయారు. జనవరిలో ఐదారుగురు సీనియర్లు ఒకేసారి పోయారంటే డబ్బు ఆగిందనే అనుమానించాలి.

గచ్చిబౌలి గ్యాలరీ:
మనవైపు నుంచి చూస్తే ఈ చర్చకు మూడో దారి కూడా ఉంది, విదేశం. హైదరాబాద్‌కు ఆడిన బోర్హా హెరేరా గ్రాన్ కనారియా వాడు. ఇజ్రాయెల్ మీదుగా 2022లో ఇక్కడికి వచ్చాడు, తర్వాత ఈస్ట్ బెంగాల్, ఆపై గోవా. 2024 సెప్టెంబర్‌లో గోవా తరఫున అదే ఈస్ట్ బెంగాల్ మీద హ్యాట్రిక్ కొట్టాడు. హవి హెర్నాందెస్ రియల్ మాద్రిద్ అకాడమీలో పెరిగి, రుమేనియా, పోలండ్ తిరిగి కోల్‌కతా క్లబ్ ఏటీకేకు వచ్చాడు. 2020 ఇండియన్ సూపర్ లీగ్ (ఐఎస్ఎల్) ఫైనల్‌లో చెన్నయిన్ మీద రెండు గోల్స్ ఆయనవే. ఇన్ని దేశాలు తిరగడం అరుగుదల అంటే నేనొప్పుకోను.

దీనికీ 23 ఏళ్ళే గీత. ఫిఫా నియమాల ప్రకారం 23 నిండిన క్యాలెండర్ ఏడాది ముగిసేదాకా వేరే దేశానికి వెళ్ళే ఆటగాడి మీద శిక్షణ పరిహారం పడుతుంది. కొనే క్లబ్ పాత క్లబ్బులకు కట్టాలి. ఆ ఏడాది దాటితే ఆ భారం ఉండదు. అంటే స్పెయిన్‌లో చీటీ బరువయ్యే వయసులోనే బయటిదేశాలకు తేలికవుతాడు. ఆ సమయానికి చేతిలో రెండేళ్ళ ఒప్పందం ఉంటే విడుదలకు డబ్బు కట్టాలి. ఏడాది ఒప్పందం ఉన్నవాడు జూన్ 30 తర్వాత ఉచితం.

కాగితాల శాస్త్రి:
గ్యాలరీ తమ్ముడూ, ఆ దారిలో గుంతలు కూడా చెప్పాలి కదా. 2023-24లో హైదరాబాద్‌లోనే జీతాలు ఆగాయి, ఫిఫా కొత్త ఆటగాళ్ళ నమోదును నిలిపేసింది, విదేశీయులు సీజన్ మధ్యలో వెళ్ళిపోయారు. అలాంటప్పుడు క్రమం తప్పకూడదు: రెండు నెలల జీతం గడువుకు రాకపోతే క్లబ్‌కు రాతపూర్వకంగా నోటీసు, తీర్చడానికి కనీసం 15 రోజులు. అప్పటికీ కట్టకపోతేనే న్యాయమైన కారణంతో ఒప్పందం రద్దు. నోటీసు ఇవ్వకుండా విమానం ఎక్కినవాడే తప్పు చేసినట్టవుతుంది.

ఇంకో సంగతి, ఐఎస్ఎల్‌లో మైదానంలో విదేశీయులు నలుగురే. ఆ నాలుగు చోట్లలో గోల్ కొట్టేవాడికి, గోల్ వేయించేవాడికి గిరాకీ. మీరు చెప్పిన ఇద్దరూ గోల్స్ కొట్టగల ఎడమకాలివాళ్ళు. అచ్చమైన పివోతెకు అక్కడ చోటు తక్కువ.

నడిమి గడి:
శాస్త్రి గారూ, అమెచ్యూర్ చీటీ మాట విన్నాక నా రెండో పిలుపు మీద షరతు పెట్టుకుంటున్నాను. వృత్తి ఒప్పందం, సామాజిక భద్రత, కిందికి పోతే ఉచిత విడుదల, ఈ మూడూ ఉంటేనే నాలుగో అంచె. వింగర్ గారి చీటీల లెక్కకు నా దగ్గర జవాబు లేదు. 24 ఏళ్ళవాడు మూడో అంచెలో మూడో పివోతెగా రెండో ఏడాది నిలవడం కష్టమే. కానీ అదే లెక్క నా వైపుకీ పనిచేస్తుంది కదా! ఎలాగూ ఏడాదికే పంపేస్తారని తెలిసినప్పుడు ఆ ఏడాది బెంచి మీద ఎందుకు పోగొట్టుకోవాలి?

విజయనగరం వింగర్:
ఎందుకంటే జనవరి ఉంది. మూడో అంచెలో సీజన్ 38 మ్యాచ్‌లు. పివోతెలకు పసుపు కార్డులు ఎక్కువ, ఐదోదానికి ఒక మ్యాచ్ నిషేధం. ముందున్న ఇద్దరికీ కలిపి డిసెంబర్‌లోపు రెండు మూడు మ్యాచ్‌లు ఖాళీ రావడం మామూలే, గాయాలు వేరే. ఆ మ్యాచ్‌లలో నిలబడితే అక్కడే ఉంటాడు. నిలబడలేదా, శీతాకాలం మార్కెట్‌లో నాలుగో అంచెలో పైకి ఎగబాకుతున్న జట్టుకు అరువు మీద వెళ్ళొచ్చు. ఆ దారి పై నుంచి కిందికే తెరుచుకుంటుంది. ఆగస్టులోనే నాలుగో అంచెకు దిగినవాడికి జనవరిలో పైనుంచి పిలుపు రావడం ఎంత అరుదో మీకూ తెలుసు.

ఆరో నంబర్:
వింగర్ అన్న లెక్కలో ఒక చిక్కు. ఆగస్టు నుంచి ఆడకుండా డిసెంబర్‌లో హఠాత్తుగా 90 నిమిషాలు దిగిన పివోతెకు 60వ నిమిషం తర్వాత కాళ్ళు లాగుతాయి, రెండో బంతులకు అర అడుగు ఆలస్యమవుతాడు. శిక్షణలో ఆ పరుగు రాదు. బెంచి ఒప్పందానికి వెళ్ళేవాడు వారం మధ్యలో స్నేహపూర్వక మ్యాచ్‌లు పెట్టే క్లబ్బేనా అని సంతకానికి ముందే అడగాలి. అలా పెట్టే క్లబ్ అయితే నేను వింగర్ అన్న వైపు. కాకపోతే నడిమి గడి గారి వైపే.