అణు ధూళి పడిన పొలంలో పైమట్టి తీసేయాలా, పొటాష్ వేసి మట్టిని అక్కడే ఉంచాలా?

నాగలిచాలు:
రియాక్టర్ ప్రమాదం జరిగి పొలాల మీద రేడియోధార్మిక సీసియం పడితే ఏం చేయాలి అని ఎవరిని అడిగినా ఒకటే జవాబు వస్తుంది: పైమట్టి గీకి దూరంగా పారేయాలి. నాకు ఈ జవాబు మింగుడు పడడం లేదు. సాగుభూమిలో తవ్వకం ఆఖరి మార్గంగానే ఉండాలని నా వాదన.

ముందు లెక్క చూడండి. 5 సెంటీమీటర్ల మందాన మట్టి తీస్తే ఎకరానికి 200 ఘనమీటర్లు వస్తుంది. 2011 రియాక్టర్ ప్రమాదం తర్వాత జపాన్‌లోని ఫుకుషిమాలో చేసింది ఇదే. అలా తీసి నిల్వ కేంద్రానికి చేర్చిన మట్టి సుమారు 1.4 కోట్ల ఘనమీటర్లు. దెబ్బతిన్న రియాక్టర్ల చుట్టూ ఒకప్పుడు ఇళ్ళు, పొలాలు ఉన్న 1,600 హెక్టార్లను ఈ మట్టి కోసమే కేటాయించారు. 2045 లోపు దాన్ని ఆ రాష్ట్రం దాటించాలని చట్టం కూడా చేశారు. తీసుకునేవాళ్ళు ఎక్కడ? తవ్వినంత మాత్రాన సీసియం మాయం కాదు కదా, చోటు మారుతుంది, అంతే.

రెండో సంగతి, సీసియం, పొటాషియం రసాయనికంగా ఒక కుటుంబానివే. వేరుకి ఆ రెండింటి తేడా సరిగ్గా తెలియదు. పొటాషియం కరువైన నేలలో వేరు దొరికిన సీసియాన్ని లాక్కుంటుంది. కడుపు నిండా పొటాష్ పెడితే దాని జోలికి పెద్దగా పోదు. ఫుకుషిమా వరి రైతులు 100 గ్రాముల మట్టికి 25 మిల్లీగ్రాముల పొటాష్ ఉండేలా ఎరువు వేశారు. 2012 నుంచి కొన్నేళ్ళపాటు అక్కడ పండిన ప్రతి బియ్యం బస్తాను యంత్రం కింద పెట్టి కొలిచారు. కిలోకి 100 బెకరెల్‌ల (రేడియోధార్మికతను కొలిచే ప్రమాణం) పరిమితి పెడితే, మొదటి ఏడాది కోటికి పైగా బస్తాల్లో 71 మాత్రమే దాటాయి. 2015 పంట నుంచి ఒక్క బస్తా కూడా దాటలేదు. ఒక్క బస్తా కూడా! అలాంటప్పుడు వందల ఏళ్ళు పట్టి తయారైన పైమట్టిని సంచుల్లో ఎందుకు మూటగట్టాలి?

గడపముందు:
నాగలిచాలు గారూ, మీరు అన్నంలోకి వచ్చేదాన్ని మాత్రమే లెక్కేస్తున్నారు. సీసియం-137 మట్టిలో కూర్చుని కూడా గామా కిరణాలు వదులుతూనే ఉంటుంది. పొలం గట్టు పక్కనే ఇల్లు ఉంటుంది, పిల్లలు ఆ మట్టిలోనే ఆడుకుంటారు. ఎంత పొటాష్ వేసినా ఆ కిరణం ఆగదు. మట్టి తీసేస్తే మీటరు ముల్లు ఆ రోజే దిగుతుంది.

ఇంకోటి. సీసియం-137 అర్ధాయువు, అంటే అందులో సగం విచ్ఛిన్నమయ్యే కాలం, 30 ఏళ్ళు. అంటే మీ పొటాష్ పథకం ఒక తరం దాటి నడవాలి. ప్రమాదం కొత్తలో ప్రభుత్వం ఎరువు ఉచితంగా ఇస్తుంది. ఇరవయ్యో ఏట బడ్జెట్ కోత పడితే? రైతు ముసలివాడై కౌలుకిచ్చేస్తే, ఆ కౌలుదారుకి ఈ కథంతా ఎవరు చెప్తారు? తవ్వకం ఒకసారితో పూర్తయ్యే పని. ఖర్చు ఎక్కువే, కానీ ఎవరూ ఏటా గుర్తుపెట్టుకోనక్కర్లేదు.

పసుపుపూలు:
ఈ రెండూ కాకుండా మొక్కలతోనే లాగించేయవచ్చు కదండీ? పొద్దుతిరుగుడు రేడియోధార్మికతను పీల్చేస్తుందని చాలాచోట్ల చదివాను. తవ్వే పని ఉండదు, మట్టి కూడా మిగులుతుంది.

బీకరు:
పసుపుపూలు గారూ, ఆ ఆశ చాలామందికి ఉంది. 2011లో జపాన్ వ్యవసాయ శాఖ పొద్దుతిరుగుడు వేసి కొలిచింది. మొక్కలు లాగింది మట్టిలో ఉన్న సీసియంలో దాదాపు 2,000వ వంతు. ఏటా అంతే లాగుతుందనుకుంటే, సీసియం తనంతట తాను విచ్ఛిన్నమయ్యే వేగం దీనికన్నా ఎన్నో రెట్లు ఎక్కువ. పైగా కోసిన మొక్కలను కాలిస్తే సీసియం అంతా బూడిదలో పేరుకుంటుంది. అది ఇంకో వ్యర్థం.

ఆ పేరు ఊరికే రాలేదు లెండి. 1986లో రియాక్టర్ పేలిన చెర్నోబిల్ దగ్గర, 1990ల మధ్యలో, చెరువులో తెప్పల మీద పొద్దుతిరుగుడు పెంచితే వేళ్ళు నీటిలోని సీసియాన్ని బాగానే పట్టుకున్నాయి. అది నీరు. నీటిలో సీసియాన్ని పట్టి ఉంచే బంకమట్టి లేదు.

ఆ పట్టు ఎలాంటిదో నేను కళ్ళారా చూశాను. చదువుకునే రోజుల్లో రేడియోధార్మికత లేని మామూలు సీసియం లవణంతో ప్రాజెక్టు చేశాను. అభ్రకం ముక్కను భూతద్దం కింద పెడితే తడిసి ఉబ్బిన పాత పుస్తకంలా ఉంటుంది. మధ్యలో పేజీలు గట్టిగా అతుక్కుని ఉంటాయి, అంచుల దగ్గర మాత్రం విచ్చుకుంటాయి. మట్టిలోని అభ్రకం జాతి బంకరేణువుల్లోనూ ఇదే అమరిక, కంటికి కనపడనంత చిన్నగా. సీసియం అయాను ఆ విచ్చుకున్న అంచులోకి జారిందంటే సరిగ్గా సరిపోయి ఇరుక్కుంటుంది. నేను సీసాలో బంకమట్టి, సీసియం ద్రావణం కలిపి కొన్ని రోజులు వదిలేసి, తర్వాత అమోనియం లవణంతో కడిగాను. మళ్ళీ కడిగాను. బయటికి వచ్చింది చాలా కొంచెం. ఫలితం తప్పొచ్చిందేమోనని టెన్షన్ పడి మొత్తం మొదటినుంచి చేశాను, మళ్ళీ అదే. వేరు వల్ల కానిది ఇందుకే. అయితే అదే కారణంగా బంకనేలలో పండిన గింజలోకి సీసియం తక్కువగా పోతుంది కూడా.

ఒండ్రునేల:
బీకరు గారు అసలు తాళంచెవి చూపించారు. బంక లేని నేల సంగతి కూడా మాట్లాడుకుందాం.

చెర్నోబిల్ మేఘం 1986 మేలో బ్రిటన్ కొండల మీద వాన కురిపించింది. అక్కడ నేల పీట్, అంటే కుళ్ళీ కుళ్ళని నాచు, ఆకులు పేరుకున్న నల్లటి మెత్తటి నేల. బంక దాదాపు శూన్యం. సీసియం గడ్డిలోకి, గడ్డిలోంచి గొర్రెలోకి తిరుగుతూనే ఉంది. మూడు వారాలని మొదలుపెట్టిన ఆంక్షలు పూర్తిగా ఎత్తేసింది 2012లో. అన్నేళ్ళూ కాపరులు గొర్రెలకు మీటరు పెట్టించుకుని, పరిమితి దాటిన వాటికి రంగు పూసి ఆపుకున్నారు. ఆ కొండల్లో తవ్వలేరు, దున్నలేరు. నార్వేలో అయితే జంతువుల మేతలో, ఉప్పులో ప్రష్యన్ బ్లూ అనే నీలిరంగు పదార్థం కలిపారు. అది పేగుల్లోనే సీసియాన్ని పట్టుకుని పేడతో బయటికి పంపుతుంది.

పసిఫిక్ సముద్రంలోని బికినీ దీవి ఇంకో తీరు. 1954లో అక్కడ అమెరికా పేల్చిన హైడ్రోజన్ బాంబు ధూళి పగడపు ఇసుక మీద పడింది. పేరుకైనా బంక లేదు, పొటాషియం కూడా బాగా తక్కువ. కొబ్బరిచెట్లు సీసియాన్ని తెగ తాగేశాయి. తిరిగొచ్చిన దీవివాసుల ఒంట్లోకి అది చేరడంతో 1978లో వాళ్ళను మళ్ళీ ఖాళీ చేయించారు. తర్వాత శాస్త్రవేత్తలు చెట్లకు పొటాష్ వేసి చూస్తే కొబ్బరిలో సీసియం పదో వంతుకన్నా కిందికి పడిపోయింది. మట్టి గీకితే ఆ దీవిలో ఉన్న కాస్త సారవంతమైన పొర కూడా పోతుంది. కాబట్టి పొటాష్ పక్షానికి ఇదే బలమైన సాక్ష్యమని నేననుకుంటాను. దీవి పెద్దలు మాత్రం మట్టి తీసేయమనే అడిగారు. వాళ్ళది తప్పని నేను అనలేను.

అణు ధూళిలో ఉండే మరో రేడియోధార్మిక పదార్థం స్ట్రాన్షియం-90 గురించి ఒక్కమాట. అది కాల్షియంలా నడుచుకుంటుంది, బంకకు అంత గట్టిగా అంటుకోదు. దానికి పొటాష్ పనిచేయదు. ఆమ్లనేలల్లో సున్నం వేస్తారు.

గడపముందు:
ప్లుటోనియానికైతే పొటాషూ లేదు, సున్నమూ లేదు. 1966లో స్పెయిన్‌లోని పలోమారెస్ ఊరి మీద అమెరికా విమానాలు ఢీకొని హైడ్రోజన్ బాంబులు పడ్డాయి. అణు విస్ఫోటనం జరగలేదు గానీ రెండింటిలోంచి ప్లుటోనియం చెదిరింది. 1,400 టన్నుల మట్టిని, పంటను పీపాల్లో నింపి అమెరికా పట్టుకుపోయారు. మిగతా చోట్ల లోతుగా దున్ని వదిలేశారు. దశాబ్దాల తర్వాత కూడా కొంత నేలకు కంచె వేయాల్సి వచ్చింది. ప్లుటోనియం అర్ధాయువు 24 వేల ఏళ్ళు. ఆ రోజు మొత్తం తవ్వేసి ఉంటే ఆ కంచె ఉండేది కాదు.

నాగలిచాలు:
ప్లుటోనియం విషయంలో ఒప్పుకుంటున్నాను, అది తవ్వాల్సిందే. ఇళ్ళ ముంగిళ్ళు, బడి మైదానాలు కూడా తవ్వాలి. పిల్లల మాట మీరెత్తినప్పుడు నా మొదటి పోస్టులో అది లేకపోవడం నాకే తప్పనిపించింది.

కానీ సీసియం పడిన పొలం వరకు నా మాట మీదే ఉన్నాను. కిరణాలకు లోతు దుక్కి ఉంది. పైపొరను నాగలితో కిందికి తిరగేస్తే మీద పడిన శుభ్రమైన మట్టే అడ్డుగోడ అవుతుంది. వేళ్ళకు కూడా చాలావరకు అందదు. ఇక తవ్వకం ఒకసారితో పూర్తయ్యే పని అన్నారు. ఫుకుషిమాలో 5 సెంటీమీటర్లు తీసి, ఆ గుంటను కొండమట్టితో నింపారు. అది పిండైపోయిన గ్రానైట్, రాళ్ళతో నిండిన ఇసుక. తీసిన పైమట్టితోపాటు సేంద్రియ పదార్థం పోయింది, పొటాషియం పోయింది. అడుగున కొంచెం సీసియం మిగిలింది. దాంతో తవ్విన పొలాలకు కూడా చివరికి పొటాష్ వేయాల్సే వచ్చింది! మీరు భయపడిన ఆ ఏటేటా ఖర్చు తవ్వినా తప్పలేదు.

గడపముందు:
ఆ సంగతి నాకు బరువుగానే ఉంది, కొట్టిపారేయను. కానీ కొనేవాడి మనసు సంగతేంటి? తవ్విన మట్టిలో నాలుగింట మూడొంతుల దాకా కిలోకి 8,000 బెకరెల్‌ల లోపే ఉంది, రోడ్ల కింద వాడొచ్చు అంటే ఫుకుషిమా బయట ఎవరూ ముందుకు రాలేదు. చివరికి 2025లో జపాన్ ప్రధాని కార్యాలయం తోటలోనే కొంత వేసి చూపించాల్సి వచ్చింది. మట్టి అక్కడే ఉంచిన పొలంలోని బియ్యం కొలతలో ఎంత శుభ్రంగా ఉన్నా, తీసుకునేవాడు "మరి మట్టి తీశారా?" అని అడుగుతాడు. రైతు ఏం చెప్పాలి?

నాగలిచాలు:
కొలత కాగితం చూపించాలి. అందుకే బస్తా బస్తా కొలిచారు, అది ఎన్నేళ్ళు కావాలంటే అన్నేళ్ళు సాగాలి. ఆ ఖర్చు రైతు మీద పడకూడదు.

ఒండ్రునేల:
మీ ఇద్దరి వాదనలోకీ రానిది ఒకటుంది, అడవి. ఫుకుషిమాలో మూడింట రెండొంతులకు పైగా అడవే. ఇళ్ళ పక్కన 20 మీటర్ల అంచు వరకే శుభ్రం చేశారు. లోపల దున్నలేరు, తవ్వితే కొండ జారుతుంది. జర్మనీ అడవుల్లో పుట్టగొడుగులు తవ్వి తినే అడవి పందుల మాంసం ఇప్పటికీ పరిమితి దాటుతోంది. ఫుకుషిమాలో పొలానికి నీళ్ళు వచ్చేది అడవిలోంచే. కుళ్ళిన ఆకుల్లోంచి కరిగి వచ్చే సీసియం బంకకు ఇంకా అంటుకోనిది, వరి వేరుకి నేరుగా అందుతుంది. కాలువ మొదట్లోనే దాన్ని పట్టే వడపోతలు వాడినవారు ఎవరైనా ఇక్కడ ఉంటే, ఎలా పనిచేశాయో రాయండి.