రీమ్యాచ్ ముందు ఇనోవే–డొనేర్ రెండూ మళ్లీ చూశా, మీ అనుభవాలు చెప్పండి

కరకట్ట రన్నర్ (విజయవాడ):
అన్నలూ, వచ్చే నెల బాక్సింగ్ సెలక్షన్స్‌లో 55 కేజీల్లో మళ్లీ ఆ గుంటూరు కుర్రాడే తగిలేట్టున్నాడు. పోయినసారి మూడు రౌండ్లూ వాడికే పోయినయ్. పడిపోలేదు, అదొక్కటే మిగిలింది.

నిన్న రాత్రి నిద్ర పట్టక జపాన్ బాక్సర్ ఇనోవే, ఫిలిప్పీన్స్ బాక్సర్ డొనేర్ ఆడిన ఫైట్లు రెండూ వరసగా చూశా. రెండుసార్లూ గెలిచింది ఇనోవేనే. 2019 నవంబర్ 7న జపాన్‌లోని సైతామాలో 12 రౌండ్లు, ఇద్దరి మొహాలూ వాచిపోయినయ్. 2022 జూన్ 7న అదే హాల్లో రెండో రౌండు 1:24కి అయిపోయింది. అదే ఇద్దరు, అదే 118 పౌండ్ల వెయిట్ (బాంటమ్‌వెయిట్ అంటారు). మధ్యలో ఏం మారింది? మీలో ఎవరైనా ఒకే మనిషితో రెండుసార్లు ఆడి ఉంటే ఆ సంగతులూ రాయండి.

మిర్చియార్డు మామ (గుంటూరు):
వయసు మారింది తమ్ముడూ, ఇంకేం మారిద్ది. రెండోసారికి డొనేర్‌కి 39, ఇనోవేకి 29. మా యార్డులో 39 ఏళ్ల హమాలీ బస్తా ఎత్తలేక కాదు, ఎత్తుతాడు. 29 ఏళ్లోడితో పందెం మాత్రం కట్టడు.

సౌత్‌పా గుంటూరు:
మామా, ఆ లెక్క ఒక్కటే అయితే మధ్యలో జరిగింది ఎక్కడ పెడతావ్? 2021 మేలో అదే డొనేర్ ఫ్రాన్స్ ఛాంపియన్ ఊబాలిని నాలుగో రౌండులో పడేసి డబ్ల్యూబీసీ బెల్టు (నాలుగు పెద్ద ప్రపంచ టైటిళ్లలో ఒకటి) లాక్కున్నాడు, 38 ఏళ్లకి. డిసెంబర్‌లో గబాయో అనే ఇంకో ఫిలిప్పీన్స్ బాక్సర్‌ని కూడా నాలుగో రౌండులోనే, పక్కటెముకల కింద కొట్టి కూర్చోబెట్టాడు. ఆర్నెల్లలో మనిషి ముసలాడైపోడు.

నాకు అసలు పాయింటు కన్ను. మొదటి ఫైటు రెండో రౌండులోనే డొనేర్ ఎడమ హుక్కుకి (పక్కనుంచి వంచి కొట్టే దెబ్బ) ఇనోవే కుడి కన్ను చిట్లింది. తర్వాత తేలింది, కంటి గుంత ఎముక విరిగింది, ముక్కు కూడా. తనకి ఇద్దరు డొనేర్లు కనపడ్డారని ఇనోవేనే చెప్పాడు. మళ్లీ పెట్టి చూడు, కుడి గ్లౌజు ఆ కంటికి అడ్డంగా పెట్టుకుని ఒంటికన్నుతో చూస్తుంటాడు. మొదట చూసినప్పుడు నేను మామూలుగా మొహం కాచుకునే గార్డు అనుకున్నా.

అంటే డొనేర్‌కి బాగా తెలిసిన ఇనోవే ఎవరు? దాదాపు పది రౌండ్లు ఒంటికన్నుతో ఆడినోడు. రెండున్నరేళ్ల తర్వాత రెండు కళ్లూ ఉన్నోడు దిగాడు. మొదటి రౌండు చివర్లో కుడి చెయ్యి పడింది, డొనేర్ కింద కూర్చున్నాడు, ఇంక లేచినా లేవనట్టే.

మిర్చియార్డు మామ:
ఈ కన్ను సంగతి బాగుంది. కానీ వయసు వయసే 😀

కరకట్ట రన్నర్:
సౌత్‌పా అన్నా, ఇది చదివి కాసేపు అట్టా కూర్చుండిపోయా. పోయినసారి నేను కూడా నేను కాదు. తూకానికి నాలుగు రోజుల ముందు 58 దాటి ఉన్నా. మే నెల ఎండలో రెయిన్‌కోటు వేసుకుని కరకట్ట మీద పరుగు, ఇంటికొచ్చి రెండు దుప్పట్లు కప్పుకుని పడుకోవడం. అమ్మ మజ్జిగ తెచ్చి పక్కన పెడితే గ్లాసు వైపు చూడకుండా గోడ వైపు తిరిగా. తూకం రోజు పొద్దున నోట్లో ఉమ్ము కూడా లేదు. 54.9 వచ్చింది. ఆ సాయంత్రం రెండో రౌండుకే భుజాలు పైకి లేవలేదు. వాడు ఆ మనిషినే చూశాడు.

పటమట పాత గ్లౌజు:
నువ్వు చేసిన పని చెప్పుతో కొట్టాల్సిన పని, ఏమనుకోకు. ప్రొఫెషనల్స్‌ని చూసి వెయిట్ కట్ (తూకం కోసం ఒంట్లో నీళ్లు తీసేయడం) చేస్తారు మనోళ్లు. వాళ్లకి తూకం ముందురోజు, ఫైటు మర్నాడు రాత్రి. మధ్యలో తాగి, తిని కోలుకుంటారు. మనకి పొద్దున తూకం, అదే రోజు బౌటు. నీళ్లు పోయిన ఒంటితో రింగెక్కితే తలకి దెబ్బ తగిలినప్పుడు ప్రమాదం ఎక్కువ. నేను పిల్లలకి చెప్పేది ఒకటే, నెల ముందు నుంచి రాత్రి అన్నం తగ్గించు, ఆఖరి వారం నీళ్లు మాత్రం మానొద్దు. కేజీన్నర కంటే ఎక్కువ ఉంటే పై వెయిట్‌లో ఆడు. పరువేం పోదు.

బ్రాడీపేట 4/14:
నాది ఉల్టా కేసు. మొదటిసారి గెలిచింది నేను, రెండోసారి ఓడింది నేను. మొదటి బౌటులో వాడు కుడి చెయ్యి ఎత్తే ముందు ఎడమ మడమ కొంచెం లేపేవాడు. అది పట్టుకుని తినేశా. ఏడాది తర్వాత ఆ మడమ కోసమే చూస్తూ నిలబడ్డా. వాడు మడమ లేపాడు, కుడి చెయ్యి రాలేదు. ఎడమ హుక్కు వచ్చింది, సరిగ్గా లివర్ మీద.

లివర్ దెబ్బ తిననోళ్లకి చెప్తా. ముందు ఏమీ అనిపించదు, ‘ఇంతేనా’ అనుకుంటావ్. ఒక సెకను అయ్యాక లోపల ఎవరో తాడు పట్టి లాగినట్టు మోకాళ్లు వంగుతయ్. బుర్ర పనిచేస్తానే ఉంటది, అంకెలు వినపడతయ్, ఒళ్లు మాట వినదు. ఇనోవే మొదటి ఫైటు పదకొండో రౌండులో డొనేర్ అట్టాగే దెబ్బ తిని, పక్కకి రెండడుగులు నడిచి, అప్పుడు మోకాలేశాడు. ఆ నడక చూస్తే నాకు ఇప్పటికీ కడుపు పట్టుకుంటది. ఒక జడ్జి పాయింట్ల కార్డు ఇనోవేకి 114-113. అట్టా కింద పడితే (నాక్‌డౌన్) ఒక పాయింటు అదనంగా పోద్ది, అది లేకపోతే ఆ కార్డు డ్రా.

కాబట్టి తమ్ముడూ, వాడి పాత వీడియో వందసార్లు చూడమాక. వాడూ నీ వీడియో చూస్తానే ఉంటాడు.

గోరంట్ల అమ్మ:
నాకు బాక్సింగ్ అంతగా తెలియదు, మా అమ్మాయి ఆడిద్ది కాబట్టి చూస్తా. ఆ మొదటి మ్యాచ్ అయ్యాక డొనేర్ ఇనోవే దగ్గర ఆయన గెలిచిన అలీ ట్రోఫీ (మహమ్మద్ అలీ పేరు మీద కప్పు) ఒక్క రాత్రికి అడిగి తీసుకున్నాడంట కదా, తెస్తానని పిల్లలకి మాటిచ్చాడని. ఓడిపోయినాయన వచ్చి అడగడం, గెలిచినాయన ఇవ్వడం. మా అమ్మాయి పతకం లేకుండా ఇంటికొచ్చిన రోజు గుర్తొచ్చింది. చెప్పులు విప్పకుండా గుమ్మంలోనే నిలబడింది, లోపలికి రాలేదు. బాబూ, ముందు ఆ మజ్జిగ తాగు.

పాత రేడియో (సత్యనారాయణపురం):
అందరూ ఒక్క జోడీ పట్టుకున్నారు. మా నాన్నగారు చెప్పే జోడీ జపాన్ ఫైటింగ్ హరాడా, బ్రెజిల్ ఎడెర్ జోఫ్రే. ఇదీ బాంటమ్‌వెయిట్ టైటిలే. 1965 మేలో నగోయాలో హరాడా స్ప్లిట్ డెసిషన్ మీద, అంటే జడ్జీలు ఇద్దరు అటు ఒకరు ఇటు అయ్యి, గెలిచాడు. అప్పటిదాకా జోఫ్రేకి ఓటమే లేదు. ఏడాదికి, 1966 మేలో, టోక్యోలో రీమ్యాచ్. ఈసారి ముగ్గురు జడ్జీలూ హరాడాకే. జోఫ్రే మొత్తం కెరీర్‌లో ఓడింది ఆ రెండే, రెండూ ఒకడి చేతిలోనే. కొందరి ఆట కొందరికి పడదు, అంతే. ఆయన మళ్లీ వచ్చి 1973లో పై వెయిట్ ఫెదర్‌లో ప్రపంచ టైటిల్ కొట్టాడు.

సౌత్‌పా గుంటూరు:
పెద్దాయనా, మూడోసారి అడగకుండా పై వెయిట్‌కి పోవడం కూడా తెలివే.

పటమట పాత గ్లౌజు:
అదే నేను పైన చెప్పింది. ఎవరూ వినరు.

కరకట్ట రన్నర్:
నెల తర్వాత అప్‌డేట్. ఈసారి నీళ్లు మానలేదు, 54.6కి తూగా. మధ్యాహ్నం పెరుగన్నం తిన్నా. రెడ్ కార్నర్‌లో గ్లౌజులు కట్టుకుంటుంటే ఎవరికి ఎవరో రాసిన డ్రా కాగితం తెచ్చారు. ఆ గుంటూరు కుర్రాడు నా లిస్టులో లేడు. 60 కేజీల్లో దిగాడు.

బ్రాడీపేట 4/14:
😂😂 ఇనోవే కూడా అంతే కదరా, నాలుగు బెల్టులూ అయ్యాక 118 వదిలేసి 122కి పోయాడు. నీ బౌటు ఏమైంది మరి?

కరకట్ట రన్నర్:
తెనాలి అబ్బాయితో పడింది. ఐదుగురు జడ్జీల్లో నలుగురు నాకే, 4-1 గెలిచా అన్నా. అయిపోయాక వాడొచ్చి పక్కన కూర్చుని, మళ్లీ ఎప్పుడు ఆడదాం అన్నాడు.