గోరుచుట్టుకు నిమ్మకాయా, కోతా? తేల్చండి

నరసరావుపేట కోడలు
మా ఆయన కుడి చేతి బొటనవేలికి గోరుచుట్టు లేచింది. గోరు పక్కన ఎర్రగా ఉబ్బి, రాత్రిళ్ళు సలుపుతో నిద్ర లేదు. మా అత్తయ్య నిమ్మకాయ తొడిగారు. ఆడపడుచు భర్త (నేను అన్నయ్య గారంటాను) ఏమో "నిమ్మకాయలతో కాలక్షేపం చేస్తే గోరు ఊడిపోతుంది, వెళ్ళి కోయించుకో" అంటున్నారు. ఈయన కత్తి పేరు వింటేనే జడుసుకునే రకం, అందుకని వెంటనే నిమ్మకాయ పార్టీలో చేరిపోయారు. ఇంట్లో రెండు పూటలా ఇదే పంచాయితీ. నిమ్మకాయలో నిజంగా ఏమైనా గుణం ఉందా, లేక కోయించడమే దారా? "మా తాతగారూ అలాగే చేసేవారు" అని ఆగిపోకుండా ఎందుకో కూడా చెప్పండి.

మెట్టపొలం
చెల్లెమ్మా, మీ అత్తయ్య చేసిందే కరెక్టు. కాకపోతే పద్ధతి ముఖ్యం. కాయ తొడిమ వైపు కోసి, వేలు పట్టేంత గుజ్జు తీసెయ్యాలి. లోపల చిటికెడు పసుపు వేసి, వేలు దూర్చి, జారకుండా పాత నూలు గుడ్డ చుట్టాలి. మొదట చుర్రుమంటుంది, కాసేపటికి చల్లబడుతుంది. పొద్దుటికి చర్మం మెత్తబడి, చీము ఉంటే దానంతటదే పగులుతుంది. మా ఊళ్ళో కూలికి వెళ్ళేవాళ్ళంతా ఇదే చేస్తారు. చిన్న గోరుచుట్టుకు ఆస్పత్రికి పోతే ఒక రోజు కూలి పోతుంది, ఆటో ఖర్చు, చీటీ ఖర్చు, పైగా కట్టు కట్టిన చేత్తో మళ్ళీ పనికి పోలేరు. నగరాల్లో కూర్చుని "డాక్టర్‌కి చూపించండి" అనడం తేలిక.

పీహెచ్‌సీ సిస్టర్
నేను నగరంలో కూర్చుని రాయడం లేదన్నా, రోజూ ఇవే కట్లు కట్టే మనిషిని. ముందు లోపల జరిగేది చెబుతాను, తర్వాత పోట్లాడుకుందాం.

గోరు మొదట్లో, పక్కల చర్మం గోటికి నీరు కూడా చొరబడనంత గట్టిగా అతుక్కుని ఉంటుంది. గోళ్ళు కొరికినా, గోరు పక్కన లేచిన తోలు పీకినా, పార్లర్‌లో ఆ అంచును వెనక్కి నెట్టి కత్తిరించినా ఆ అతుకు విడిపోతుంది. ఎక్కువగా స్టెఫిలోకాకస్ అనే బాక్టీరియా ఆ సందులోంచి లోపలికి పోతుంది. అక్కడ సాగడానికి చోటే లేదు కాబట్టి చుక్క చీము చేరినా ఒత్తిడి పెరిగి, నాడి కొట్టుకున్నప్పుడల్లా పోటు పెడుతుంది. చెయ్యి కిందికి వేలాడదీస్తే పోటు ఎక్కువ, పైకెత్తి పెట్టుకుంటే తక్కువ. అందుకే రాత్రి దిండు మీద చెయ్యి పెట్టి పడుకోమంటాం.

ఇందులో రెండు దశలున్నాయి. చీము పట్టకముందు ఎర్రగా, వేడిగా ఉంటుంది. అప్పుడు ఓర్చుకోగలిగినంత గోరువెచ్చని నీళ్ళలో పది పదిహేను నిమిషాలు, రోజుకు మూడు నాలుగు సార్లు వేలు ముంచితే చాలా వాటికి అక్కడితో సరి. చీము పట్టాక మాత్రం అది బయటికి రావాల్సిందే. దీనికి కోత అనే పేరు పెట్టి భయపెట్టారు గానీ, చాలాసార్లు చర్మం కోయనే కోయం. వేలు తిమ్మిరెక్కడానికి ఇంజెక్షన్ ఇచ్చి, గోటికీ చర్మానికీ మధ్య సన్నటి పనిముట్టు పెట్టి అంచును కొంచెం పైకి లేపుతాం. చీము జారిపోతుంది. కుట్లుండవు. అప్పటిదాకా పళ్ళు కొరుక్కున్న మనిషి మొహం అక్కడే తేటపడుతుంది.

చీము పట్టిందో లేదో తెలియకపోతే వేలి కొనను కింది వైపు నుంచి, మెత్తటి భాగం మీద, మెల్లగా నొక్కి చూస్తాం. చీము ఉన్నంత మేరా గోరు పక్కన తెల్లగా పాలిపోయి గీత గీసినట్టు కనపడుతుంది.

మెట్టపొలం
అయితే సిస్టర్ గారూ, మీరు నా మాటే చెబుతున్నారు! నానబెడితే తగ్గుతుందన్నారు. నిమ్మకాయ చేసేదీ నానబెట్టడమేగా? మీ వేడినీళ్ళు పది నిమిషాలు, నా నిమ్మకాయ రాత్రంతా. నాట్లప్పుడు మడిలో ఉన్న మనిషి రోజుకు నాలుగుసార్లు నీళ్ళు కాచుకుని కూర్చుంటుందా? నిద్రపోతూ చేసుకునే వైద్యం కాబట్టే ఇన్ని తరాలు నిలిచింది.

మందుల కొట్టు
మధ్యలో దూరుతున్నాను. మా కొట్టుకు వచ్చేవాళ్ళు నిమ్మకాయా అడగరు, కోతా అడగరు. వేలు చూపించి "దీనికి రెండు బిళ్ళలివ్వు" అంటారు. యాంటీబయాటిక్ రెండు పూటలు వేసుకుని, సలుపు తగ్గగానే మానేస్తారు. వారం తర్వాత అదే వేలు, అదే బేరం. చీటీ లేకుండా ఇవ్వనంటే పక్క కొట్టుకు పోతారు. ఈ గొడవలో అసలు దోషి బిళ్ళ అని నా అభిప్రాయం.

ఇంకో సంగతి. మొటిమలకు డాక్సీసైక్లిన్ అనే యాంటీబయాటిక్ వాడుతూ ఎండలో తిరిగేవాళ్ళలో కొందరికి గోళ్ళ కింద నొప్పి పుట్టి, గోళ్ళు చివర్ల నుంచి లేచిపోతాయి. అలాంటి కుర్రాడొకడు గోరుచుట్టనుకుని అన్ని వేళ్ళకూ పసుపు పూసుకుని వచ్చాడు. అన్ని వేళ్ళకూ ఒకేసారి గోరుచుట్టు ఎక్కడన్నా వస్తుందా!

పీహెచ్‌సీ సిస్టర్
బిళ్ళల సంగతి నిజం. మూసుకుపోయిన చీములోకి మందు సరిగ్గా చేరదు. చీము తీసేశాక, ఎరుపు పైకి పాకకుండా, మనిషికి వేరే జబ్బులేమీ లేకపోతే చాలాసార్లు యాంటీబయాటిక్ అవసరమే పడదు. ఎరుపు చేతి మీదికి పాకినా, జ్వరం వచ్చినా, షుగర్ ఉన్నా అప్పుడు కావాలి, అదీ డాక్టర్ రాసినన్ని రోజులూ.

మెట్టపొలం అన్నా, నానబెట్టడం వరకు మీతో నాకు పేచీ లేదు. కానీ రాత్రంతా తడిలో ఉంటే పక్కనున్న మంచి చర్మం కూడా నాని పాలిపోతుంది, ఆ అతుకు ఇంకాస్త విడిపోతుంది. దాని మీద ఆమ్లం. ఆ చేత్తోనే పొద్దున్నే ఎండలోకి పోతే, రసం అంటిన చోటల్లా కాలినట్టు బొబ్బలెక్కి నల్లమచ్చలు పడే ప్రమాదం ఉంది. కొందరు పసుపులో సున్నం కలిపి పట్టిస్తారు. అది ఇంకా అన్యాయం. సున్నం ఘాటైన క్షారం, తోలు కాలుస్తుంది. కాలిన పుండు కింద చీము ఎంతుందో మాకూ తెలియదు.

అన్నిటికన్నా భయం వేలి కొన మెత్తటి భాగం గట్టిపడి ఉబ్బడం. అది గోరుచుట్టు కాదు, కొనలోనే చీము. అశ్రద్ధ చేస్తే ఎముకకు పాకుతుంది. నిమ్మకాయ తొడిగినవాళ్ళకు ఆ వాపు కనపడదు.

పల్లెర్ల మెస్సు
మీరిద్దరూ ఒక్క వేలికి వారంలో తగ్గే గోరుచుట్టు గురించి మాట్లాడుతున్నారు. నాది వేరు. హాస్టల్ మెస్సులో వంట పని, పొద్దున్నుంచి రాత్రిదాకా చేతులు నీళ్ళలోనే. బియ్యం కడగడం, ఉల్లిపాయలు, వెల్లుల్లి, గిన్నెల సబ్బు. నాలుగైదు వేళ్ళకు గోరు మొదట్లో చర్మం ఉబ్బి, గోటిని వదిలేసి, నెలల తరబడి మంట. గోళ్ళ మీద అడ్డంగా గట్లు. నిమ్మకాయ పెడితే ప్రాణం పోయినంత పని. ఒక డాక్టర్ యాంటీబయాటిక్ రాశారు, ఇంకొకరు ఫంగస్ అని బిళ్ళలు రాశారు. కొంచెం తగ్గడం, మళ్ళీ రావడం.

చివరికి చర్మ డాక్టరమ్మ చూసి, ఆరు వారాలు దాటి ఉండేదాన్ని వేరే జబ్బుగా చూడాలన్నారు. సబ్బు, తడి తగిలి చర్మం రేగిపోవడమే మూలమట, ఫంగస్ ఆ సందులో తర్వాత వచ్చి చేరుతుందట. స్టెరాయిడ్ ఆయింట్‌మెంట్ ఇచ్చి, లోపల నూలు గ్లౌజు, దాని మీద రబ్బరు గ్లౌజు వేసుకోమన్నారు. ఉత్త రబ్బరుది వేసుకుంటే లోపల చెమటతో అదే తడి. గోటికీ చర్మానికీ అతుకు మళ్ళీ కుదురుకోవడానికి నెలలు పట్టింది. మందు కన్నా కష్టం మెస్సులో గ్లౌజు వేసుకుని పని చేయడం. "ఏంటమ్మా, డాక్టరువా?" అని వెక్కిరిస్తారు. తడి మానకుండా ఎవరు ఏ వైద్యం చేసినా దండగే.

దంతవైద్యం మూడో ఏడు
కోత పార్టీకి ఒక మాట. కోయకూడని రకం కూడా ఉంది. హెర్పిస్ వైరస్ వల్ల వేలి కొన మీద చిన్న చిన్న నీటి బొబ్బలు గుంపుగా లేస్తాయి, నొప్పి విపరీతం. నోట్లో పుండ్లున్న పసిపిల్లలు వేలు చీకినప్పుడు, పేషెంట్ల నోళ్ళలో ఒట్టి చేతులు పెట్టేవాళ్ళకు వస్తుంది. దాన్ని చీమనుకుని కోస్తే లాభం లేకపోగా ఇన్ఫెక్షన్ ఇంకా పాకవచ్చు. కాబట్టి "ఉబ్బితే కోసెయ్" అనేదీ మూఢనమ్మకమే.

మెట్టపొలం
అదిగో! చదువుకున్న పిల్లే చెప్పింది.

గచ్చిబౌలి షూస్
కాలి బొటనవేలి సంగతి ఎవరూ ఎత్తరేంటి? గోరు అంచు పక్క మాంసంలోకి దిగి, బూటు వేసుకుంటే నరకం. మొదటిసారి చూపించిన చోట మొత్తం గోరు పీకేశారు. ఏడాది పైగా పట్టింది మళ్ళీ పూర్తిగా రావడానికి, వచ్చీ రాగానే అదే మూలలో దిగింది! కాలిగోరు నెలకు మిల్లీమీటరున్నర పెరిగితే గొప్ప. రెండోసారి వేరే డాక్టర్ దిగిన పక్క సన్నటి పట్టీ మాత్రమే తీసి, దాని వేరు దగ్గర ఫినాల్ అనే కాల్చే రసాయనం పెట్టి ఆ అంచు మళ్ళీ మొలవకుండా చేశారు. గోరు కొంచెం సన్నబడింది, అంతే. మొత్తం పీకించుకోమని ఎవరన్నా అంటే ఎందుకని అడగండి. మళ్ళీ రాకుండా ఉండాలంటే గోరు అడ్డంగా తిన్నగా కత్తిరించాలి. మూలలు గుండ్రంగా లోపలికి తవ్వకూడదు. నాకు మొదలైంది అలా తవ్వడం వల్లేనట.

నరసరావుపేట కోడలు
కాలి వేలికి వేరే చర్చ పెట్టుకుందాం అన్నయ్యా, ఇక్కడ మా ఆయన చేతి సంగతే తేలేలా లేదు :)

చలికాలం శత్రువు
నాది చేతి వేలే కాబట్టి రాస్తున్నాను. అందరూ వాపు, చీము అంటున్నారు. నాకు రెండూ లేవు. ఉంగరపు వేలి గోరు కింద ఒకే ఒక్క చోట నొప్పి. ఫ్రిజ్‌లోంచి నీళ్ళ సీసా తీస్తే మోచేతి దాకా లాగేది. డిసెంబరులో కుళాయి నీళ్ళు ముట్టుకోలేను. పైకి ఏమీ కనపడదు, కాబట్టి ఎవరూ నమ్మరు. నిమ్మకాయ అయింది, బిళ్ళలయ్యాయి, మెడ ఎక్స్‌రే అయింది, "టెన్షన్ తగ్గించుకోండి" అని సలహా కూడా అయింది. ఏళ్ళు గడిచాయి.

ఒక చేతుల సర్జన్ గుండుసూది తలతో గోరు మీద అక్కడక్కడా నొక్కుతూ వచ్చారు. ఒక్క చోట కెవ్వుమన్నాను, పక్కన మిల్లీమీటరు జరిపితే ఏమీ లేదు. తర్వాత చేతికి బీపీ పట్టీ కట్టి గాలి కొట్టి రక్తం ఆపి అదే చోట నొక్కితే నొప్పి లేదు! వదలగానే మళ్ళీ వచ్చింది. గ్లోమస్ ట్యూమర్ అన్నారు. వేలి కొనలో వేడి, చలికి రక్తప్రవాహాన్ని సర్దే సూక్ష్మమైన భాగంలో పుట్టే కణితి, దాదాపు ఎప్పుడూ క్యాన్సర్ కాదు. ఎంఆర్‌ఐలో కనపడింది, కందిగింజంత కూడా లేదు. గోరు ఎత్తి తీసేశారు. దీనికి నిమ్మకాయా పనికిరాదు, యాంటీబయాటిక్కూ పనికిరాదు. చలికి లాగుతూ, ఒకే చోట పొడుస్తూ, పైకి ఏమీ కనపడకపోతే గోరుచుట్టు వైద్యాలన్నీ పక్కన పెట్టి ఈ పేరు చెప్పి అడగండి.

మెట్టపొలం
అమ్మా, ఇలాంటిది ఒకటుందని ఇప్పుడే వింటున్నాను. మరి సిస్టర్ గారూ, సుత్తి దెబ్బ తగిలి గోరు నల్లబడితే సూది ఎర్రగా కాల్చి గోటికి బెజ్జం పెట్టి నెత్తురు వదిలిస్తాం. అది కూడా తప్పంటారా?

పీహెచ్‌సీ సిస్టర్
తప్పనను. ఆస్పత్రిలోనూ అదే పని చేస్తాం, శుభ్రమైన పనిముట్టుతో. దెబ్బ తగిలిన ఒకటి రెండు రోజుల్లో, సలుపు బాగా ఉంటేనే. ఎముక విరిగిందేమో, గోరు కింద చర్మం చీలిందేమో చూడకుండా ఇంట్లో పొడవకండి. ధనుర్వాతం ఇంజెక్షన్ సంగతీ మర్చిపోకండి. గోళ్ళ రంగు, అంటించుకున్న గోళ్ళు ఉంటే నిప్పు సెగ దగ్గరికి రానివ్వద్దు, అంటుకుంటాయి.

దెబ్బ మచ్చ గోటితో పాటు ముందుకు జరుగుతుంది. దెబ్బేమీ లేకుండా వచ్చి, జరగకుండా, వెడల్పు అవుతూ, గోరు మొదటి చర్మం మీదికి కూడా నలుపు పాకితే మాత్రం క్యాన్సర్ కాదని తేల్చుకోవాలి. మన రంగు మనుషులకు గోళ్ళ మీద నల్లటి చారలు మామూలుగానూ ఉంటాయి, ప్రతి చారకూ హడలిపోవద్దు.

నరసరావుపేట కోడలు
నిన్న సాయంత్రం వెళ్ళొచ్చాం. సిస్టర్ గారు చెప్పినట్టే కింద నుంచి నొక్కితే పక్కన తెల్లగా పాలిపోయింది. ఇంజెక్షన్ ఇచ్చి అంచు లేపారు, చీము వచ్చింది, రాత్రి గురక పెట్టి నిద్రపోయారు. బిళ్ళలు నొప్పికి మాత్రమే ఇచ్చారు. షుగర్ టెస్టు చేయించమన్నారు, పొద్దున రక్తం ఇచ్చాం. అత్తయ్య మాట మాత్రం మారలేదు: "నా నిమ్మకాయ మెత్తబరచబట్టే అంత తేలిగ్గా వచ్చింది." అన్నయ్య గారేమో "చెప్పానా" అని ఫోన్ చేశారు. పంచాయితీ అలాగే ఉంది.

మెట్టపొలం
అత్తయ్యకు నా నమస్కారాలు చెప్పు చెల్లెమ్మా. షుగర్ ఉన్నవాళ్ళకు వద్దు, సరే. సున్నం వద్దు, సరే. చీము పట్టకముందు, మొదటి రాత్రి మాత్రం నిమ్మకాయే. అది వదిలేది లేదు.

పీహెచ్‌సీ సిస్టర్
చీము పట్టిందో లేదో పైన నిమ్మకాయ ఉండగా ఎలా చూస్తారన్నా?

మెట్టపొలం
పొద్దున తీసి చూస్తాం. మీరు చెప్పినట్టే, కింద నుంచి నొక్కి.